బీరువా తలుపు, భోగిపళ్లు

మన ఇళ్లలో వైఫై రౌటర్ ఎక్కడ ఉండాలో నిర్ణయించే అధికారం ఇంటి యజమానికి లేదు. అది నిచ్చెన పట్టుకొచ్చిన కుర్రాడిది. స్తంభం నుంచి వైరు ఏ కిటికీకి దగ్గరైతే ఆ కిటికీ పక్కన గోడకు చిల్లు పెట్టి, అక్కడే మేకులు కొట్టి, రౌటర్ తగిలించి, "ఇల్లంతా వచ్చేస్తుందండీ" అని అభయమిచ్చి వెళ్లిపోతాడు. కోనసీమలో మా పెద్దనాన్న ఇంట్లో ఆ కిటికీ పడమటి గదిది. పరుపులు, పాత ఫ్యాను, పెళ్లినాటి ఇనుప బీరువా ఉండే గది. మనుషులు మసలేదంతా దానికి అవతల. కాబట్టి ఆ ఇంట్లో ఇంటర్నెట్ ఏ లోటూ లేకుండా అందేది పరుపులకే.

కిందటి సంక్రాంతికి అమెరికా నుంచి అన్నయ్య ఫోన్ చేసి, మేనల్లుడికి భోగిపళ్లు పోయడం వీడియోలో చూస్తానన్నాడు. హాల్లో సిగ్నల్ నిలకడగా ఉండదని పెద్దనాన్న దిగులుపడుతుంటే, పండక్కి వచ్చిన బావగారు నవ్వారు. హైదరాబాద్‌లో ఆయన ఉద్యోగమే అది. మాల్‌లు, ఆసుపత్రులు కట్టకముందే నక్షా చూసి, ఏ అంతస్తులో ఏ మూల సిగ్నల్ ఎంత ఉంటుందో కంప్యూటర్‌లో లెక్కగట్టి చెబుతారు.

"పది అంతస్తుల భవనాలకే చెప్పాను మామయ్యగారూ, ఇదెంత?" అన్నారు.

అత్తవారింట్లో అల్లుడు అనకూడని మాటలు కొన్ని ఉంటాయి. వాటిలో ఇదొకటి.

మా వైపు సంక్రాంతి అల్లుళ్లు టిఫిను ముగించి కోడిపందేల దారి పడతారు. ఈయన టేపు పట్టుకుని గోడల దారి పట్టారు. పెద్దనాన్న లెక్కల మాస్టారుగా రిటైరయ్యారు. టేపు రెండో కొస ఆయన పట్టుకున్నారు. ప్రతి గోడ దగ్గరా ఆగి దాని చరిత్ర చెప్పారు. "ఇది మా తాతగారు డంగు సున్నంతో కట్టించింది. 18 అంగుళాలు. దీనికి మేకు దిగదు." బావగారి ప్రోగ్రాములో ఇటుక, కాంక్రీటు, చెక్క, అద్దం ఉన్నాయి గానీ డంగు సున్నం లేదు. కాసేపు ఆలోచించి, ఇటుక గోడలు రెండు పక్కపక్కన నిలబెట్టి తాతగారి గోడ అనిపించారు.

లెక్క విషయంలో మామా అల్లుళ్లకు బాగా కుదిరింది. సిగ్నల్ బలాన్ని డెసిబెల్‌లలో లెక్కగడతారనీ, మూడు డెసిబెల్‌లు తగ్గితే శక్తి సగమవుతుందనీ, పది తగ్గితే పదో వంతే మిగులుతుందనీ బావగారు చెప్పగానే, "అయితే పది చొప్పున మింగే గోడలు రెండు దాటితే మిగిలేది నూరో వంతు. మా డి.ఏ. బకాయిలకు కూడా ఈ సూత్రమే వాడుతున్నట్టున్నారు" అన్నారు పెద్దనాన్న. ఖాళీ జాగాలో సిగ్నల్ ఎలా తగ్గుతుందో 1946లో ఫ్రిస్ అనే ఇంజినీరు సూత్రం రాశారు. దూరం రెట్టింపైతే ఆరు డెసిబెల్‌లు పోతాయి. అయితే ఖాళీ జాగాలో ఎవరూ కాపురం ఉండరు కాబట్టి, గోడలకూ అంతస్తులకూ లెక్క కట్టే సూత్రాలు తర్వాత చాలా వచ్చాయి. 2014లో లండన్‌లో ఒక భౌతికశాస్త్ర పరిశోధక విద్యార్థి తన ఫ్లాట్‌లో రౌటర్ ఎక్కడ పెట్టాలో తేల్చుకోవడానికి తరంగాలు ఎలా పరుచుకుంటాయో చెప్పే హెల్మ్‌హోల్ట్స్ సమీకరణాన్నే ఏకంగా సాధించాడట. ఫ్లాట్ మధ్యలో పెడితే మేలని తేలింది. అది మా పెద్దమ్మను అడిగినా చెప్పేది.

పెద్దమ్మకు నచ్చనిది సిగ్నల్ అంకె ముందుండే ఆ మైనస్ గుర్తు. మైనస్ 67 ఉంటే వీడియో కాల్‌కు ఢోకా లేదని బావగారు అంటే, "మైనస్‌లో ఉన్నదాన్ని బాగుందంటారేమిటి బాబూ? మీ మామయ్యగారి బ్యాంకు ఖాతా అలా ఉంటే ఊరుకుంటామా?" అంది. ఒక మిల్లీవాట్‌ను సున్నా అనుకుంటామనీ, ఇంట్లో మనకు అందేది మామూలుగా అందులో లక్షో వంతు కూడా ఉండదు కాబట్టి మైనస్ తప్పదనీ ఆయన వివరించారు. పెద్దమ్మ గారెలు వడ్డిస్తూ వింది. బావగారు ఉత్సాహంగా ఒక గారె ఎత్తి, చిల్లులో చూపుడు వేలు నిలువుగా దూర్చి, "ఈ వేలు యాంటెనా అనుకోండి అత్తయ్యగారూ. సిగ్నల్ దీని చుట్టూ అచ్చం ఈ గారెలాగా పరుచుకుంటుంది. పక్కలకు బాగా వెళుతుంది, నేరుగా పైకీ కిందికీ వెళ్లదు" అన్నారు. నూనె మోచేతి దాకా కారింది. పాఠం నాకు అర్థమైంది. పెద్దమ్మకు అర్థమైంది వేరు: అల్లుడు ఇంకో రెండు గారెలు తింటాడని.

మధ్యాహ్నానికి ఇంటి పటం తయారైంది. సిగ్నల్ బాగున్న చోట ఆకుపచ్చ, మధ్యరకానికి పసుపు, రాని చోట ఎరుపు. పడమటి గదికీ హాలుకూ మధ్య రెండు గుమ్మాలున్నాయి. రౌటర్ నుంచి దక్షిణపు గుమ్మం గుండా ఆకుపచ్చ పట్టీ ఒకటి తిన్నగా వచ్చి, హాల్లో పిల్లవాడి పీట వేసే చోటును తాకుతోంది. అక్కడ మైనస్ 60 అని రాసి ఉంది.

పెద్దమ్మ కళ్లజోడు సవరించుకుని, "వంటింటికి ఎర్రరంగు వేశారేమిటి?" అంది.

"అక్కడికి సిగ్నల్ రాదండీ."

"ఈ ఇంట్లో వంటింట్లోకి మీ మామయ్యగారే రారు. అదెందుకు వస్తుంది?"

బావగారు ఫోను పట్టుకుని గదిగదికీ తిరిగి సరిచూశారు. పటం ఒకటి రెండు డెసిబెల్‌ల తేడాతో సరిపోయింది. ఇది ఒప్పుకోవాలి. ఆ లెక్కలో తప్పు లేదు. కాకపోతే అది మధ్యాహ్నం రెండు గంటలప్పటి ఇంటి లెక్క.

మూడింటికి పెద్దమ్మ, అక్క కలిసి బొమ్మల కొలువు మొదలుపెట్టారు. కొలువుకు మెట్లు కావాలి కదా. అటక మీది ఇనుప ట్రంకు పెట్టెలు దించి, ఒకదాని మీద ఒకటి పేర్చి, పైన పెద్దనాన్న పంచె పరిచారు. ఎక్కడ? ఎవరూ నడవని దక్షిణపు గుమ్మానికి అడ్డంగా. పక్కన అలంకారానికి నిండుగా నీళ్లు పోసిన ఇత్తడి గంగాళం, అందులో బంతిపూలు. రేడియో తరంగాలను ఆపమని ఎవరైనా గుత్తకు ఇచ్చినా అంత పకడ్బందీగా కట్టరు. ఇనుము తరంగాన్ని వెనక్కి కొడుతుంది, నీళ్లు పీల్చుకుంటాయి. అప్పటికి బావగారు భుక్తాయాసంతో మేడ మీద నిద్రపోతున్నారు.

సాయంత్రం ఆరింటికి వీధిలోని పేరంటాళ్లంతా వచ్చారు. మనిషి ఒంట్లో సగానికి పైగా నీరే కాబట్టి, సిగ్నల్ దృష్టిలో వాళ్లంతా పట్టుచీరలు కట్టుకున్న గంగాళాలే. ఫోన్‌ను తూర్పు గోడ దగ్గర స్టూలు మీద నిలబెట్టి కాల్ కలిపారు. అన్నయ్య ముఖం వచ్చింది, నోరు తెరిచింది, అలాగే ఆగిపోయింది. మాట మాత్రం ముక్కలుగా వినిపించింది: "పళ్లు... పళ్లు..."

"పాపం, పంటి నొప్పేమో అబ్బాయికి" అంది పక్కింటి మామ్మగారు.

బావగారు ఫోన్‌లో చూస్తే మైనస్ 84. ఆయన చూపు కొలువు మీద పడింది. పంచె కొస ఎత్తి చూశారు. ట్రంకు పెట్టెలు. ఆ పూట ఆయన ముఖంలో రంగులు కూడా పటంలో ఉన్నట్టే మారాయి. కొలువు తీయించమనడానికి నోరు రాదు. సీతారాముల పట్టాభిషేకం జరుగుతోంది పైమెట్టు మీద. తరంగాలు గోడలకు తగిలి వచ్చి ఒకదానితో ఒకటి కలిసే చోట జానెడు జరిగినా తేడా వస్తుందని చెప్పి, స్టూలును ఇటూ అటూ జరిపించారు. పీట కూడా తిప్పుదామన్నారు.

"జరిపితే జరపండి, వాడి ముఖం మాత్రం తూర్పుకే ఉండాలి" అంది పెద్దమ్మ. పీట మీద పిల్లవాడు ఈలోగా పళ్లెంలోంచి చెరుకు ముక్కలు, రేగుపళ్లు తినేసి చిల్లర నాణేల దగ్గరికి వచ్చాడు.

అప్పుడు పెద్దమ్మ పేరంటాళ్లకు రవికె గుడ్డలు తేవడానికి పడమటి గదిలోకి వెళ్లి బీరువా తెరిచింది. హాల్లో అన్నయ్య ముఖం ఒక్కసారిగా కదిలి, "...పోయండమ్మా, ఎంతసేపు!" అన్నాడు. ఆమె బీరువా మూసింది. అన్నయ్య మళ్లీ బిగుసుకుపోయాడు.

బావగారు గుమ్మంలోకి పరుగెత్తారు. ఇనుప తలుపు వారగా తెరిస్తే రౌటర్ నుంచి వచ్చే తరంగం దానికి తగిలి, ఉత్తరపు గుమ్మం గుండా హాల్లోకి మళ్లుతోందట. "అత్తయ్యగారూ, దాన్ని అలాగే ఉండనివ్వండి!"

"ఊరంతా ఇంట్లో ఉండగా బీరువా తెరిచి పెట్టమంటారా?"

ఇంతకన్నా గట్టిగా అభ్యంతరం చెప్పినవారు పెద్దనాన్న. "వద్దు, వద్దు. నగలుంటాయి. మూసేయండి. వీడియో లేకపోతే ఏమైంది, ఫొటోలు పంపుదాం" అన్నారు. పొద్దుటి నుంచి టేపు మోసిన మనిషి సైన్సు మీద అంత త్వరగా ఆశ వదులుకోవడం నాకు వింతగా అనిపించింది.

చివరికి నన్ను కాపలా పెట్టారు. తలుపు ఎంత తెరవాలో బావగారు హాల్లోంచి అరిచి చెప్పారు. "ఇంకొంచెం... ఇంకొంచెం... అక్కడ!" మైనస్ 65. బొమ్మ అద్దంలా నిలిచింది. పిల్లవాడి తల మీద రేగుపళ్లు, చేమంతి రేకులు, శనగలు, నాణేలు పడ్డాయి. వాడు ఏడ్చాడు. అమెరికాలో చప్పట్లు కొట్టారు. అంతా నిర్విఘ్నంగా జరిగిపోతోందనుకున్నాం.

కెమెరా పడమటికి చూస్తోంది. పిల్లవాడి వెనక ఉత్తరపు గుమ్మం, గుమ్మంలో తెరిచిన బీరువా.

"అమ్మా, వీడియో ఎంత స్పష్టంగా ఉందో! బీరువా పై అరలో పట్టుచీరల వెనక డబ్బా మీద అక్షరాలు కూడా కనిపిస్తున్నాయి. ఆత్రేయపురం పూతరేకులు. ఈసారి మీరు చేయలేదా, తెప్పించారా?"

హాలంతా నిశ్శబ్దం. పెద్దనాన్నకు షుగరు వచ్చి చాలా ఏళ్లయింది. ఆయన సీతారాముల వైపు భక్తిగా చూడసాగారు. పెద్దమ్మ నెమ్మదిగా లోపలికి వచ్చి, డబ్బా దించి, మూత తీసి, ఎన్ని మిగిలాయో లెక్కపెట్టింది. ఆ లెక్కకు కంప్యూటర్ అక్కరలేదు. ఉన్నవాటిని పేరంటాళ్లకు రవికె గుడ్డలతో పాటు పంచేసింది.

కనుమ వెళ్లాక కొలువు ఎత్తేశారు. పెట్టెలు అటక ఎక్కించబోతే పెద్దమ్మ ఆపింది. ఆ గుమ్మం దగ్గరే బాగున్నాయంది. బీరువా తాళంచెవి నడుముకు దోపుకుంది. ఇప్పుడు పెద్దనాన్నకు హాల్లో కూర్చుని వార్తలు చూడాలనిపిస్తే వెళ్లి బీరువా తెరవమని అడగాలి. పొద్దున షుగరు ఎంతుందో చెప్పమంటుంది ఆవిడ.