టీవీలో మూడెకరాలు

(అంబాజీపేటకి కూతవేటు దూరంలో ఒక పెంకుటిల్లు. వేసవి. కాలవలు కట్టేశారు, కరెంటు మాత్రం ఉంది. కొడుకు బెంగళూరు వెళ్తూ వదిలేసిన ప్లేస్టేషన్ ఆటల డబ్బా టీవీ కింద నీలంగా మెరుస్తోంది. దాని ఎదురుగా సూర్రావు, వయసు 63, చేతిలో కంట్రోలర్. ఆ పక్కనే మంగతాయారు చేతులకి నూనె రాసుకుని, కత్తితో పనసపొట్టు కొడుతోంది.)

సూర్రావు: తాయారూ, ఓసారి నీ కార్డియ్యవే.

తాయారు: ఏ కార్డండీ? రేషన్ కార్డా, ఆధార్ కార్డా?

సూర్రావు: ఏటీఎం కార్డే.

తాయారు: ఎందుకో?

సూర్రావు: వ్యవసాయానికి.

(కత్తి ఆగింది.)

తాయారు: ఏ వ్యవసాయం? ఉన్న మూడెకరాలూ కౌలుకిచ్చేసి చేతులు కడుక్కున్నారుగా?

సూర్రావు: ఇది టీవీలో చేసే వ్యవసాయం. ఫార్మింగ్ సిమ్యులేటర్ 25 అని స్విట్జర్లాండు వాళ్లు చేశారు, 2024 నవంబరులో వచ్చింది. ఈసారి వరి పెట్టారే అందులో! మడి కట్టి, నీళ్లు పెట్టి, నాట్లేసి... గేదెలు కూడా ఉన్నాయి.

తాయారు: బాగానే ఉంది సంబడం. నిజం పొలం గిట్టుబాటు కావట్లేదని ఇంకోడికిచ్చి, ఉత్తుత్తి పొలం డబ్బెట్టి కొంటారా?

సూర్రావు: అందులో గిట్టుతుందే పిచ్చిదానా. కూలి మనిషి కావాలంటే ఒక్క బటన్. వచ్చేసి దున్నేసి పోతాడు.

తాయారు: పదింటికి టీ, మధ్యాహ్నం ఆటో ఛార్జీ అడగడా?

సూర్రావు: నోరే ఎత్తడు. కూలి మాత్రం తీసుకుంటాడు, అదీ ఆట డబ్బుల్లోనే. 2011లో కోనసీమ రైతులంతా కడుపు మండి, సాగు మానేసి క్రాప్ హాలిడే పెట్టిన ఖరీఫ్‌లో నాకిలాంటి కూలివాడొక్కడు దొరికుంటేనా!

తాయారు: గాలివానలుండవా?

సూర్రావు: సుడిగాలుంది, వడగళ్లున్నాయి. అవి పాడుచెయ్యకుండా ఉండాలంటే సెట్టింగ్ మార్చుకోడమే.

తాయారు: ఆ సెట్టింగేదో కలెక్టరాఫీసులో చెప్పిరండి, పుణ్యముంటుంది. ఇంతకీ ఎంత?

(సూర్రావు నోటితో చెప్పలేదు. కంట్రోలర్ కిందపెట్టి, వేళ్లు చూపించి, చటుక్కున ముడిచేశాడు.)

తాయారు: వందలా, వేలా?

సూర్రావు: పెద్ద ఆటలు కొత్తలో ఇంకా ఎక్కువే ఉంటున్నాయే! దాంతో పోలిస్తే ఇది...

తాయారు: వేలన్నమాట. సరే, అన్నీ అందులోనే వచ్చేస్తాయా?

సూర్రావు: ఆయ్, వచ్చేస్తాయి. కొన్ని ట్రాక్టర్లు విడిగా కొనుక్కోవాలనుకో. చేపలు పట్టాలన్నా హైలాండ్స్ ఫిషింగ్ అని ఇంకో పొడిగింపుంది, దానికి వేరే.

తాయారు: గోదారొడ్డున పుట్టి చేపలు పట్టడానికి విదేశాలకి డబ్బు కడతారా! మీ నాన్నగారు వింటే ఫొటోలోంచి దిగొస్తారు. అయినా ఆ కార్డు గొడవెందుకు? కాకినాడలోనో రాజమండ్రిలోనో షాపులో బిళ్ల దొరకదా? మా తమ్ముడి కొడుకు సెకండ్‌హ్యాండ్‌ది తెచ్చుకుని, ఆడేసి, మళ్లీ అమ్మేస్తాడు. పదో పరకో పోతుంది, అంతే.

సూర్రావు: బిళ్ల దొరుకుతుంది. పెట్టడానికి కన్నం లేదు.

తాయారు: ఏ కన్నం?

సూర్రావు: ఇది డిజిటల్ ఎడిషనే. 2021లో వీటిని మనదేశంలోకి తెచ్చినప్పుడు బిళ్ల పెట్టుకునేది 49,990, బిళ్ల పెట్టడానికి లేనిది 39,990. నీ కొడుకు రెండోది కొన్నాడు.

తాయారు: పదివేలు మిగిల్చాడు నా తండ్రి!

సూర్రావు: ఏం మిగల్చడం! ఆ పదివేలకే కన్నం వచ్చేది. కన్నముంటే బేరమాడొచ్చు, అరువు తెచ్చుకోవచ్చు, ఆడేశాక అమ్ముకోవచ్చు. ఇప్పుడు ఈ ప్లేస్టేషన్ చేసే సోనీ వాడి ఆన్‌లైన్ కొట్టు తప్ప మనకి గతిలేదు, వాడు చెప్పిందే ధర. తర్వాతొచ్చిన సన్నరకానికైతే బిళ్ల పెట్టే డ్రైవ్ విడిగా కొని తగిలించుకోవచ్చు. మన పాతదానికి అదీ అతకదు.

తాయారు: ఆ కొట్లో ఆషాఢం సేల్ ఉండదా?

సూర్రావు: అప్పుడప్పుడూ పెడతారే. ఆ లోపల నా దుక్కి అదునెళ్లిపోతుంది.

తాయారు: టీవీలో అదునేంటండీ, నా మొహం!

సూర్రావు: పోనీ ఇంకో దారుంది. ప్లేస్టేషన్ ప్లస్ అని చందా. ఎసెన్షియల్, ఎక్స్‌ట్రా, డీలక్స్, మూడు రకాలు. నెలకి కట్టొచ్చు, ఏడాదికి కట్టొచ్చు. పైరకాలు తీసుకుంటే ఆటల గుట్టే మన ముందు పోస్తారు, ఏది కావాలంటే అది ఆడుకోడమే.

తాయారు: చందా ఆపేస్తే?

సూర్రావు: తాళమేసేస్తారు.

తాయారు: అంటే కౌలు. పొలం వాడిది, చాకిరీ మీది.

సూర్రావు: ...అంతే అనుకో.

తాయారు: మీరు అడిగే వరి ఆట ఆ గుట్టలో ఉందా?

సూర్రావు: అందులో వస్తుంటాయి, పోతుంటాయి. ఉన్నన్నాళ్లుంటుంది.

తాయారు: ఇచ్చిన కౌలు రాబట్టడానికే మనకి తాతలు దిగొస్తున్నారు, మళ్లీ ఎదురు కౌలు కడతారా? పైగా గడువైపోగానే దానంతటదే డబ్బు లాగేస్తుంది. మీ కొడుకు ఆ పాటల చందా పెట్టినప్పుడు చూశాంగా!

సూర్రావు: ఊరికే లాగదే. రిజర్వు బ్యాంకు రూలుంది. కనీసం 24 గంటల ముందు మెసేజీ పెట్టాకే తీసుకోవాలి.

తాయారు: ఎవరికి మెసేజీ?

సూర్రావు: (గొణుగుతూ) ఖాతాకున్న నంబరుకి.

తాయారు: ఆ నంబరెవరిది?

(సూర్రావు టీవీ వైపు చూశాడు. ఖాతా ఇద్దరిదీ, నంబరు ఒక్కరిదే. కొబ్బరికాయల డబ్బు, కౌలు డబ్బు, కొడుకు పంపేది, ఏది పడ్డా టింగుమనేది తాయారు ఫోనే. ఆయన ఫోన్‌కి కట్టిన వేరే ఖాతాలో టిఫిను తింటే కాఫీకి చాలని నిల్వ.)

సూర్రావు: అందుకే కార్డూ వద్దు, చందా వద్దు. గిఫ్ట్ కార్డుంది. ఫోన్లో యూపీఐతో కొనుక్కుంటే ఒక కోడ్ వస్తుంది. అది ఇక్కడ కొడితే వాలెట్లో డబ్బు పడుతుంది. బ్యాంకు నంబరు ఆ కొట్టువాడికి ఇవ్వక్కర్లేదు. నువ్వు నా ఫోన్‌కి ఓ నాలుగు... ఓ కొంచెం కొట్టు, మిగతాది నేను చూసుకుంటా.

తాయారు: కోడ్ గుండ్రంగా వేలల్లో ఉంటుంది. ఆట ధర గుండ్రంగా ఉండదు. మిగిలింది?

సూర్రావు: వాలెట్లో ఉంటుంది.

తాయారు: తీసుకోవచ్చా?

సూర్రావు: తీసుకోడానికుండదు. ఇంకో ఆటకి పనికొస్తుంది.

తాయారు: ఇంకో ఆట! అదీ అసలు సంగతి. డల్లాస్‌లో ఉన్న అల్లుడుగారినే ఓ గిఫ్ట్ కార్డు పంపమంటే పోదా? మొన్న పండక్కి ఏం కావాలి మావయ్యగారూ అని అడిగారుగా.

సూర్రావు: అడిగేశా.

తాయారు: అడిగేశారా! పరువు తీశారు కదండీ!

సూర్రావు: పాపం పంపాడు కూడాను. అమెరికా కార్డు అమెరికా ఖాతాలోనే ఎక్కుతుంది, మనది ఇండియా ఖాతా. ఒకసారి దేశం రాశాక మార్చుకోడానికుండదు. ఊరికే కోడ్‌లిస్తామనే సైట్లున్నాయి గానీ అవన్నీ దొంగవి, మనవడే చెప్పాడు.

తాయారు: మనవడంటే గుర్తొచ్చింది. వాడికేదో పిల్లల ఖాతా పెట్టాడుగా మీ కొడుకు? నెలకింతని డబ్బుకి హద్దు, రోజుకిన్ని గంటలని ఆటకి హద్దు. అది మీకు పెడితే?

సూర్రావు: నాకు 63 ఏళ్లే!

తాయారు: ఆ డబ్బాకేం తెలుసు?

సూర్రావు: పద్దెనిమిది దాటితే పిల్లల ఖాతా ఇవ్వరు. దానికంటే మర్యాదైంది ఒకటుంది. యూపీఐ సర్కిల్. నీ ఖాతాలోంచి నేను కట్టుకునేలా నన్ను నీ సర్కిల్లో పెట్టుకోవచ్చు. నెలకి 15 వేలు, ఒక్కోసారికి 5 వేలు, అంతకి మించనివ్వరు. నువ్వు ఇంకా తక్కువ పెట్టుకున్నా నేనేమీ అనుకోను.

తాయారు: పెళ్లైన దగ్గర్నుంచీ మీరు నా సర్కిల్లోనే ఉన్నారండి. మళ్లీ ఫోన్లో కూడానా? ఇదిగో, చేతులు జిగురుగా ఉన్నాయి, బీరువా మీద పర్సులో ఉంది కార్డు. తీసుకోండి.

(ఇంత తేలిగ్గా ఇచ్చేసిందంటే అనుమానపడాల్సింది. సూర్రావు ఆనందంలో అనుమానపడలేదు. కళ్లజోడు నుదుటి మీంచి ముక్కు మీదకి దించుకుని, కార్డు వెలుతురుకి పట్టుకున్నాడు. అంకెలు సగం అరిగిపోయాయి. కంట్రోలర్ మీద బొటనవేలితో తెరమీద అంకెల మీదకి వెళ్లాలి, నొక్కాలి. ఏడు మీదకి వెళ్దామంటే ఎనిమిది మీదకి జారిపోతోంది. పదహారు అంకెలు, గడువు నెల, గడువు సంవత్సరం, వెనకాల మూడంకెలు. ఈలోపు తాయారు అరకాయ పొట్టు కొట్టేసింది.)

సూర్రావు: చెల్లదంటోందే!

తాయారు: చెల్లదు. నేనే ఆపించా.

సూర్రావు: ఆపించావా!

తాయారు: 2020 మార్చి నుంచి ఏ బ్యాంకైనా కొత్త కార్డిస్తే ఏటీఎంలోనూ, షాపులో గీకడానికీ మాత్రమే పనిచేస్తుంది, అదీ మన దేశంలోనే. ఆన్‌లైనూ, ఫారినూ మనం ఆన్ చేస్తేనే. రిజర్వు బ్యాంకు వాళ్లు మీలాంటివాళ్లని చూసే పెట్టారు. కౌంటర్లో ఆ అమ్మాయి పెడదామా అండీ అంది. వద్దమ్మా, ఇంట్లో మగాళ్లున్నారన్నా.

సూర్రావు: ఇప్పుడైనా పెట్టవే. ఆ బ్యాంకు యాప్‌లో ఒక్క మీట.

తాయారు: నంబరు ఆ డబ్బాలో దాచుకుంటుందా?

సూర్రావు: 2022 అక్టోబరు నుంచి కొట్టువాళ్లు అసలు నంబరు దాచుకోకూడదు. దాని బదులు టోకెన్ ఏదో పెట్టుకుంటారు.

తాయారు: అబ్బాయి చెప్పలేదా? 2011లో ఈ ప్లేస్టేషన్ వాళ్ల దగ్గరే దొంగలు పడి, ఏడుకోట్ల డెబ్భై లక్షల ఖాతాల వివరాలు పోయాయి. మూడు వారాలపైన మూసుకున్నారట.

సూర్రావు: మనం హాలిడే పెట్టిన ఏడే వాళ్లూ పెట్టారన్నమాట. చూడు, ఆ కష్టం రైతుకే తెలుస్తుంది. ఆన్ చెయ్యవే, నీకు దణ్ణం.

(తాయారు ఒక చేయి కొంగుకి తుడుచుకుని మీట జరిపింది. మళ్లీ పదహారంకెలు. ఈసారి తెర కదిలింది. టింగుమని తాయారు ఫోన్ మోగింది. సూర్రావు ఎగిరి దూకబోయాడు.)

తాయారు: ముట్టుకోకండి!

సూర్రావు: ఓటీపీ వచ్చిందే!

తాయారు: చేతులు కడుక్కురావద్దా? జిగురు సబ్బుకి పోదు, మళ్లీ నూనె రాసి తుడవాలి.

సూర్రావు: టైమైపోతుందే! నేను చూస్తా.

తాయారు: మీరెలా చూస్తారు? ఇందులోనే రాశారు చూడండి, 'ఓటీపీ ఎవరికీ చెప్పవద్దు.' పోలీసులూ అదే చెప్తున్నారు, బ్యాంకువాళ్లూ అదే చెప్తున్నారు.

సూర్రావు: నేను ఎవరినే? మొగుణ్ణి!

తాయారు: మొగుడికి చెప్పొచ్చని రాయలేదండి.

(గడువైపోయింది. మళ్లీ పంపించమని సూర్రావు బటన్ నొక్కాడు. ఈసారి తాయారు తాపీగా ఫోన్ తీసి, దూరంగా పట్టుకుని, కళ్లు చికిలించింది.)

తాయారు: అటక మీద ఇత్తడి సామాను దింపుతారా?

సూర్రావు: రేపే.

తాయారు: నాలుగు.

సూర్రావు: తర్వాత?

తాయారు: కౌలు బాకీకి మీరే వెళ్లాలి. నన్ను పంపించకూడదు.

సూర్రావు: వెళ్తా, వెళ్తా!

తాయారు: ఒకటి. కొబ్బరి దింపుడువాడు వస్తే టీవీ కట్టేసి దగ్గరుండి లెక్కపెట్టాలి.

సూర్రావు: అయ్యో, ఒట్టు! మిగిలినవన్నీ చెప్పెయ్, మిగిలిన పనులన్నీ చేసేస్తా!

(చెప్పింది. నొక్కాడు. తెరమీద టిక్కు పడింది. సూర్రావు మొహం నీరందిన నారుమడయింది.)

తాయారు: ఆ కింద సన్నక్షరాలేంటండీ? పైకి చదవండి.

సూర్రావు: (ఉత్సాహంగా) కొన్న 14 రోజుల్లోపు అడిగితే డబ్బు వాపసు... డౌన్‌లోడ్ మొదలెట్టకపోతే...

(అక్కడ ఆగిపోయాడు. చదవకుండా ఉండాల్సింది.)

తాయారు: అయితే దించకండి.

సూర్రావు: ఏంటీ?

తాయారు: పద్నాలుగు రోజులు చూద్దాం. సామాను దిగాలి, బాకీ రావాలి, కాయలు లెక్కకి రావాలి. అన్నీ అయితే దించుకోండి. లేదంటే డబ్బు దించుకుందాం.

సూర్రావు: అంటే కొనుక్కుని కూడా ఆడకూడదా! మరి దించుకోమని ఎప్పుడు చెప్తావ్?

తాయారు: పదిహేనో రోజు పొద్దున్న.

(సూర్రావు వేళ్లమీద లెక్కేసుకున్నాడు. పదిహేనో రోజుకి వాపసు గడువు దాటిపోతుంది. గొంతు ఒక్కసారిగా మెత్తబడింది.)

సూర్రావు: ఆయ్, అలాగే తాయారూ. నీ మాట ఎప్పుడు కాదన్నాను?

తాయారు: (ఆయన మొహం కేసి తేరిపార చూసి) పదమూడో రోజు.