సవరణ: ఎర్నీ కోవాక్స్ టేబుల్ సీన్ ఎడిటింగ్ ట్రిక్ కాదు

మొన్న అమెరికన్ టీవీ కామెడీ రైటర్, ప్రొడ్యూసర్ ఎర్నీ కోవాక్స్ మీద పెట్టిన పోస్టులో, ఫ్లాస్కులోంచి పాలు పక్కకి పోయే సీన్ ని ఎడిటింగ్ ట్రిక్ అని రాసి ఉంది, అది సరిచేస్తున్నా, ఎందుకంటే ఆయన బుర్ర ఏంటో తెలిసేదే అక్కడ.

ఆ సీన్ 1957 జనవరి 19న అమెరికన్ టీవీ ఛానెల్ ఎన్‌బీసీలో వచ్చిన అరగంట షోలోది, దాంట్లో డైలాగులే ఉండవు. అంతకుముందు స్లాట్ కమెడియన్ జెర్రీ లూయిస్‌ది, అంత పెద్ద స్టార్ తర్వాత ఎవరు వస్తారండీ, ఈయన వచ్చాడు. సెట్టునీ టేబుల్‌నీ వాలుగా కట్టించి, కెమెరాని కూడా సరిగ్గా అంతే వాల్చాడు. దాంతో మనకి అన్నీ తిన్నగానే కనిపిస్తాయి, కానీ డబ్బాలోంచి తీసిన ఆలివ్‌లు టేబుల్ మీద దొర్లుకుంటూ పోతాయి, పాలేమో కప్పులో పడకుండా ఏటవాలుగా కారిపోతాయి. మోసం చేసేది కెమెరా, పాలు మాత్రం న్యాయంగా కిందకే పడుతున్నాయి!

ఇంకోటి, కామెంట్స్‌లో కొందరు ఆయన్ని ఉత్త నటుడు అనుకున్నారు. కాదు, రాయడం, తీయడం కూడా ఆయనే, 1961లో ఇంకో ఛానెల్ ఏబీసీకి చేసిన స్పెషల్స్‌లో అది బాగా తెలుస్తుంది. 1962 జనవరి 13న కారు యాక్సిడెంట్‌లో పోయాడు, 42 ఏళ్లే.

ఆయన షోల టేపులు ఛానెల్ వాళ్లు భద్రంగా దాచారని ఆ పోస్టులో ఉన్న లైన్ కూడా తీసేశా. వాళ్లు అప్పట్లో పాత టేపులు చెరిపేసి మళ్లీ వాడుకునేవాళ్లు. ఆయన భార్య, నటి ఈడీ ఆడమ్స్ సొంత డబ్బు పెట్టి కొని కాపాడబట్టే ఇవాళ మనం ఇన్ని చూడగలుగుతున్నాం, ఆ క్రెడిట్ ఆవిడకే దక్కాలి.