వివాది స్వరాన్ని వెలివేయని నీతి

తిరునాళ్లలో ప్రభ ఒరిగి ఎవరికైనా దెబ్బలు తగిలితే మర్నాడు పేపర్లో వచ్చే శీర్షిక ‘ఉత్సవంలో అపశ్రుతి’. ఎవరైనా హద్దు దాటితే ‘శ్రుతి మించి రాగాన పడింది’ అంటాం. మంచీచెడూ మాట్లాడాల్సిన చోట తెలుగువాడి నోటికి సంగీతపు మాట వస్తుంది. ఈ మాటల అడుగున ఒక ఆలోచన ఉందని నాకు చాలాకాలంగా అనిపిస్తోంది. దాన్ని ఎవరూ ఒక దర్శనంగా కూర్చలేదు. కూర్చి ఉంటే ఎలా ఉండేదో ఊహించి, ‘శ్రుతి దర్శనం’ అని నేనే పేరు పెట్టుకున్నాను. అలాంటి సంప్రదాయం చరిత్రలో లేదు. ఉండాల్సిందని నా వాదన.

అది పుట్టడానికి మా ప్రకాశం నేల తగినదే. త్యాగరాజు ఇంటిపేరైన కాకర్ల కంభం వైపు ఊరు. శ్యామశాస్త్రి పూర్వీకులూ కంభం నుంచే దక్షిణాదికి వెళ్లారని చెబుతారు. చీరాల నుంచి రైల్లో ఒంగోలు వస్తుంటే తగిలే కరవది, షేక్ చినమౌలానా పుట్టిన ఊరు. ముస్లిం కుటుంబంలో పుట్టి, తంజావూరు బాణీ నేర్చి, శ్రీరంగంలో స్థిరపడి రంగనాథుడి ముందు నాదస్వరం ఊదిన మనిషి.

సంగీతానికీ నీతికీ ముడిపెట్టినవాళ్లు లోకంలో చాలామందే ఉన్నారు. ప్లేటో తన ఆదర్శ రాజ్యానికి డోరియన్, ఫ్రిజియన్ బాణీలు చాలన్నాడు. శోకాన్నీ మత్తునూ పెంచే బాణీలను పొలిమేర దాటించాడు. చైనాలో కన్ఫ్యూషియస్ జెంగ్ అనే రాజ్యపు పాటలను దూరం పెట్టమన్నాడు. ఇద్దరి మందూ ఒకటే: చెడ్డ స్వరాన్ని వెలివేయి, ఊరు బాగుపడుతుంది. వెలి అంటే ఏమిటో మన ఊళ్లకు బాగా తెలుసు. అందుకే ఆ మందును నేను నమ్మలేను.

నాట్యశాస్త్రంలో భరతుడు స్వరాల చుట్టరికాన్ని నాలుగు విధాలుగా చెప్పాడు: వాది, సంవాది, అనువాది, వివాది. శ్రుతి అంటే ఇక్కడ స్వరాల మధ్య దూరాన్ని కొలిచే చిన్న మెట్టు. తొమ్మిది లేదా పదమూడు శ్రుతుల ఎడం ఉన్న స్వరాలు సంవాదులు. షడ్జమ పంచమాలు (స, ప) అలాంటివే. రెండే శ్రుతుల ఎడంలో ఒరుసుకునేవి వివాదులు. సంవాదం, వివాదం అని మనం రోజూ అనే మాటలే ఇవి. నన్ను ఆపేసింది ఆ ఎడం లెక్క. సంవాదానికి కాస్త ఎడం కావాలి, వివాదం దగ్గరివాళ్ల మధ్యే పుడుతుంది. గట్టు తగాదా పక్క చేనివాడితోనే కదా వచ్చేది.

మరి వివాదిని ఏం చేశారు? కర్ణాటక సంగీతంలో మూల రాగాలైన 72 మేళకర్తల్లో 40 వివాది స్వరాలున్న మేళాలే. సగానికి పైగా అన్నమాట. త్యాగరాజు ఘనరాగ పంచరత్నాల్లో మొదటిది ‘జగదానందకారక’. అది నాట రాగం, వివాది రాగం. అందులో షట్శ్రుతి రిషభమూ (‘రి’లో ఒక రకం) అంతర గాంధారమూ (‘గ’లో ఒక రకం) పక్కపక్కనే ఉంటాయి. స్వరాలు పైకి ఎక్కేటప్పుడు రెండూ పలుకుతాయి. దిగేటప్పుడు గాంధారం పక్కకు తప్పుకుంటుంది, మధ్యమం నుంచి నేరుగా రిషభానికి వస్తారు. నాటకున్న గాంభీర్యం ఆ ఒరిపిడిలోంచీ, ఆ తప్పుకోవడంలోంచీ వచ్చిందేనని నా నమ్మకం. (వరాళి అనే మరో వివాది రాగం పాఠం చెబితే గురుశిష్యులకు చెడుతుందనే నమ్మకం కూడా మనదే. మనుషుల మధ్య చెడితే పాపం స్వరం ఏం చేసింది?)

పెద్దమనుషులు చెప్పే ‘సర్దుకుపోండి’కీ దీనికీ చాలా తేడా ఉంది. ఆ సర్దుబాటులో ఎప్పుడూ తగ్గేది బలం లేనివాడే. గాంధారం అలా కాదు, ఎక్కేటప్పుడు తన మాట నిండుగా చెప్పాకే దిగేటప్పుడు దారి ఇచ్చింది.

ఇదంతా నిలవాలంటే కింద శ్రుతి ఉండాలి, అంటే పాటంతా ఆనుకునే, ఆగకుండా మోగే ఆధార స్వరం. ఇప్పుడు శ్రుతి పెట్టె వచ్చింది గానీ, సన్నాయి మేళంలో ఒకప్పుడు శ్రుతి పట్టడానికే ఒక మనిషి ఉండేవాడు. బుగ్గలు పూరించి గంటల తరబడి ఒకే స్వరం ఊదేవాడు. వినేవాళ్లు అతని వైపు చూడరు, అతను ఆపితే మాత్రం అందరికీ తెలుస్తుంది. శ్రుతి ఎంతలో ఉండాలో ప్రధాన విద్వాంసుడే నిర్ణయిస్తాడు, ఒప్పుకుంటాను. కానీ ఒకసారి పెట్టాక ఆయనా దానికి లోబడాల్సిందే. తప్పితే, ఎంత పెద్దవాడైనా తప్పినట్టే. నా దర్శనానికి ఆయువుపట్టు ఇదే.

ఇంత సంగీతం ఉన్న నేల మరి నీతిగా బతికిందా అని అడుగుతారు. అడగాలి. మేళగాళ్ల చేత పెళ్లంతా వాయించుకుని, భోజనాల దగ్గర వాళ్లను వేరే కూర్చోబెట్టిన ఊళ్లు మనవే. ఇక ప్రకాశం జిల్లా అనగానే చాలామందికి కరవది కన్నా ముందు గుర్తొచ్చేది కారంచేడు. ఇప్పుడది బాపట్ల జిల్లాలో ఉంది, అప్పుడు మాదే. మాదిగలు తాగే చెరువు నీళ్లను పై కులంవాళ్లు మురికి చేస్తుంటే, వద్దన్నారు. అంతే. 1985 జులై 17న పల్లె మీద పడి ఆరుగురిని చంపారు.

ఆ చెరువు దగ్గర శ్రుతి ఏది? తాగే నీళ్లు శుభ్రంగా ఉండాలన్న నియమం. దాన్ని తప్పింది బలమున్నవాళ్లు. గుర్తుచేసినవాళ్ల గొంతు వాళ్ల చెవికి అపశ్రుతిలా వినిపించింది. బలవంతుడు తన గొంతునే శ్రుతి అనుకున్న రోజున ఎదుటివాడి న్యాయమైన మాట కూడా అలాగే వినిపిస్తుంది. ‘సామరస్యం’ అన్న మాట మీద నాకున్న భయమూ ఇదే. ఊరంతా ఒకే రసం కావాలంటే ముందు ఎవరి నోరో మూతపడాలి. నాటలో ఏ నోరూ మూతపడలేదు.

కారంచేడు బాధితులు చీరాలకు తరలిపోయి అక్కడే కొత్తగా ఇళ్లు కట్టుకున్నారు. ఊరు విడిచి వెళ్లాల్సి వచ్చింది శ్రుతి గుర్తుచేసినవాళ్లకు.