వేలు తీస్తే కదా!

మేం కట్టుకుంటున్న ఇంటి ముందు గోడకు మూడు కిటికీలున్నాయి. ఎడమ చివరి దానికన్నా కుడి చివరిది 4 అంగుళాలు ఎత్తులో ఉంది. మధ్యది రెండు పక్షాలకూ నచ్చజెప్పే పెద్దమనిషిలా 2 అంగుళాల దగ్గర ఆగింది. ఇది డిజైన్ కాదు. ఎవరైనా అడిగితే డిజైనే అని చెబుదామనుకున్నాను గానీ, మా ఆవిడ ఇప్పటికే ఓ నలుగురికి అసలు సంగతి చెప్పేసింది. మిగతావాళ్ళకైనా నా నోటితో నేను చెప్పుకుంటే కాస్త గౌరవంగా ఉంటుందని రాస్తున్నాను.

ఇల్లు మొదలుపెట్టేముందు కనిపించిన ప్రతివాళ్ళూ ఒకే మాట అన్నారు, "దగ్గరుండి కట్టించుకో" అని. ఎంత దగ్గరగా ఉండాలో మాత్రం ఎవరూ చెప్పలేదు. పునాదులు, ప్లింత్ బీమ్, పిల్లర్లు, స్లాబు అన్నీ దగ్గరుండే చేయించాను. కాంక్రీటు పోసేరోజు టేపు పట్టుకుని తిరిగి, స్లాబులో ఇనుము కింద 20 మిల్లీమీటర్లు, బీముకి 25, పిల్లరుకి 40 కవర్ (ఇనుము బయటికి కనపడకుండా ఉండే కాంక్రీటు మందం) ఉందో లేదో చూసి, రెండుచోట్ల ఆ ఎడం నిలిపే కవర్ బ్లాకులు లేవని పని ఆపించాను కూడా. వాళ్ళు విసుక్కున్నా పెట్టారు. ఆ రోజు నుంచి కూలీలు నన్ను చూసి బీడీలు దాచుకోవడం మొదలుపెట్టారు. నా పతనానికి బీజం అక్కడే పడిందని ఇప్పుడు అర్థమవుతోంది.

స్లాబు కింద సెంట్రింగ్ చెక్కలు ఊడదీశారు, ఇటుకలు వచ్చాయి, గోడలు లేపాలి. దానికి ముందు ప్రతి పిల్లరు మీదా ఇంటి నేల మట్టం నుంచి 3 అడుగుల ఎత్తులో ఒక గీత పెడతారు. ఆ గీతలన్నీ ఒకే లెవెల్లో ఉండాలి. కిటికీ ఎక్కడ మొదలవ్వాలి, దాని మీద అడ్డంగా వేసే లింటెల్ ఎక్కడ రావాలి, సన్‌షేడ్ ఎక్కడ వెయ్యాలి, అన్నీ ఆ గీత నుంచే కొలుస్తారు. రసమట్టం, అదే బుడగ ఉండే లెవెల్ కర్ర, చిన్న దూరాలకు పనికొస్తుంది గానీ పిల్లరు నుంచి పిల్లరుకు గీత తీసుకెళ్ళాలంటే లెవెల్ ట్యూబే. పొడవాటి పారదర్శకమైన గొట్టం, అందులో నీళ్ళు, అంతే. బ్యాటరీ అక్కర్లేదు, చదువు అక్కర్లేదు. గొట్టం ఎన్ని వంకర్లు తిరిగినా రెండు చివర్లలోనూ నీళ్ళు ఒకే ఎత్తులో నిలబడతాయి. చిన్నప్పుడు సైన్సు పుస్తకంలో బొమ్మ వేసి మరీ చదువుకున్నాం.

ఆ రోజు హెల్పర్ రాలేదు. మేస్త్రి ఇటూ అటూ చూసి, "సార్, ఓ చెయ్యి వేస్తారా" అన్నాడు. చెయ్యి ఏమిటి, రెండూ వేశాను. గొట్టం చివర నాకిచ్చి, "వేలు పెట్టి మూసి తెండి సార్, నీళ్ళు ఒలికిపోతాయి" అన్నాడు. బొటనవేలితో గట్టిగా మూసి, మొదటి పిల్లరు దాకా నడిచి, గీత దగ్గర పట్టుకుని నిలబడ్డాను.

గమనించండి. మూయమన్నాడు. తీయమనలేదు.

రెండో చివర పట్టుకుని మేస్త్రి రెండో పిల్లరు దగ్గరికి వెళ్ళాడు. సరిగ్గా అప్పుడే ఆయన ఫోను మోగింది. మా మేస్త్రి ఫోను సంగతి కొంచెం చెప్పాలి. ఆయన పని మా ఇంట్లోనే చేస్తాడు, మాట్లాడేది మాత్రం ఇంకో నాలుగు ఇళ్ళతో. ఆ నాలుగిళ్ళ వాళ్ళతో మాట్లాడేటప్పుడు ఎంత ఓపికో! "వచ్చేస్తున్నా సార్, మీ పనే చూస్తున్నా సార్" అంటాడు, మా గోడ ముందు నిలబడి. అంటే వాళ్ళ ఇంటి దగ్గర ఉన్నప్పుడు నాకు కూడా అలాగే చెబుతాడన్నమాట. ఈ లెక్క నాకు మొదటి నెలలోనే అర్థమైంది. అర్థమై ఏం చేయగలిగాను? ఏమీ లేదు.

భుజానికీ చెవికీ మధ్య ఫోను ఇరికించుకుని, ఒక చేత్తో గొట్టం, ఇంకో చేత్తో పెన్సిలు పట్టుకుని, మాటల మధ్యలో "ఉందా సార్?" అని అరిచేవాడు.

నేను చూసేవాణ్ణి. నీళ్ళు సరిగ్గా గీత మీదే ఉన్నాయి. వెంట్రుకవాసి కూడా కదల్లేదు.

"ఉంది!" అనేవాణ్ణి.

ఇలా ఇరవై అయిదు నిమిషాలు. ఎడంచేత్తో గొట్టాన్ని పిల్లరుకు ఆనించి, కుడి బొటనవేలితో మూతి మూసి, గీతకు కన్ను సరిసమానంగా ఉండాలని మోకాళ్ళు సగం వంచి నిలబడ్డాను. అది కూర్చోవడమూ కాదు, నుంచోవడమూ కాదు. మెడ మీద చీమ ఎక్కింది. కాలరు మీదుగా లోపలికి దిగి, వీపంతా సర్వే చేసి, ఎక్కడా నచ్చక మళ్ళీ మెడ దగ్గరికి వచ్చింది. గోక్కోవడానికి చెయ్యి ఖాళీ లేదు. రోడ్డు మీద వెళ్ళే పెద్దాయన ఒకాయన ఆగి, నన్ను చూసి, గొట్టాన్ని చూసి, ఇది ఆసుపత్రి వ్యవహారమేమో అనుకున్నట్టు తలాడించి వెళ్ళిపోయాడు. అయినా నేను చలించలేదు. నీళ్ళూ చలించలేదు. నా చెయ్యి ఎంత స్థిరంగా ఉందోనని లోలోపల మురిసిపోయాను కూడా. "హెల్పర్ పట్టుకుంటే నీళ్ళు ఊగుతా ఉంటాయి సార్, మీది భలే నిలకడ" అని మేస్త్రి మెచ్చుకున్నాడు. రాత్రి ఇంటికెళ్ళి ఆ మాట మా ఆవిడకు రెండుసార్లు చెప్పాను.

నీరు పల్లమెరుగు, నిజం దేవుడెరుగు అంటారు. కానీ నీరు పల్లమెరగాలంటే రెండు మూతులూ తెరిచి ఉండాలి. ఒకవైపు వేలు పెట్టి బిగిస్తే లోపలి గాలి ఎటూ పోలేదు, నీళ్ళు ఎటూ కదల్లేవు. అవతలివాడు తన చివర ఎంత ఎత్తితే నీళ్ళు అంత ఎత్తుకు ఎక్కి కూర్చుంటాయి. మా నేల మీద కుడివైపు నింపుడు మట్టి ఎక్కువ పోసి ఉంది. మేస్త్రి ఒక్కో పిల్లరు దగ్గరికీ వెళ్ళి, తనకు సుఖంగా ఉన్న చోట, అంటే ఛాతీ ఎత్తులో, గొట్టం పట్టుకున్నాడు. "ఉందా సార్?" "ఉంది!" గీత. ఆ రకంగా మా ఇంటి లెవెల్ భూమ్యాకర్షణ ప్రకారం కాకుండా మేస్త్రి ఛాతీ ప్రకారం నిర్ణయమైంది. ద్రోణుడిలా ఆయన ముందే నా బొటనవేలు దక్షిణగా అడిగి ఉంటే ఇల్లు బాగుపడేది.

గోడలు లేచాయి, లింటెల్స్ పడ్డాయి, సన్‌షేడ్లు పోశారు. అనుమానం రావలసినవాడికి రాలేదా అంటే వచ్చింది. ఇటుకలందించే కుర్రాడు, "కుడివైపు ఒక వరస ఎక్కువ పట్టిందేంటి మేస్త్రీ?" అని అడిగాడు. "లెవెల్ సారే పట్టారు" అన్నాడు మేస్త్రి. నేను పక్కనే ఉన్నాను. గంభీరంగా తలూపాను. కుర్రాడు నోరు మూసుకున్నాడు. ఒక్కో కిటికీ మీద రసమట్టం పెట్టి చూస్తే బుడగ బుద్ధిగా మధ్యలోనే ఉంది. మూడిటినీ కలిపి చూడాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు. పరంజా కర్రల వెనక ఏదీ సరిగ్గా కనిపించదు కూడా.

మరి ఇంజనీరు ఏం చేస్తున్నాడంటే, దారిలో ఉన్నాడు. మూడు వారాలుగా దారిలోనే ఉన్నాడు. నేను రోజూ ఫొటోలు పంపేవాణ్ణి, ఆయన ప్రతి ఫొటోకీ బొటనవేలు బొమ్మ ఒకటి పంపేవాడు. ఈ ఇంటిని ముంచినవి రెండు బొటనవేళ్ళు. నావైపు నుంచి ఒకటి, ఆయన వైపు నుంచి ఒకటి. నాదానికి కనీసం నొప్పి పుట్టింది.

మొన్న ఆదివారం పరంజా కొంత విప్పారు. మొదటిసారి ముందువైపు పూర్తిగా కనిపించింది. ఉప్పొంగిపోయి ఫొటో తీసి చుట్టాల గ్రూపులో పెట్టాను. "ఫోను తిన్నగా పట్టుకోరా నాయనా" అని పెద్దమ్మ రాసింది. తిన్నగా పట్టుకుని మళ్ళీ తీశాను. మళ్ళీ అదే. ఫోను కొంచెం వంచితే కిటికీలు సర్దుకున్నాయి గానీ కరెంటు స్తంభం పడిపోతున్నట్టు వచ్చింది. స్తంభాన్ని నిలబెడితే కిటికీలు మెట్లెక్కాయి. ఇలా పదకొండు ఫొటోలు తీశాక మామగారు ఫోన్ చేశారు. "అల్లుడుగారూ, ఇల్లు కాస్త తల వంచి చూస్తున్నట్టుందే" అన్నారు. ఆయన ఎప్పుడూ అంతే, తిట్టరు.

మేస్త్రిని నిలదీశాను. ఆయన దూరంగా వెళ్ళి, ఒక కన్ను మూసి, చాలాసేపు చూసి, "ప్లాస్టింగ్‌లో కవరైపోద్ది సార్" అన్నాడు. ఈ మాట ఇల్లు కట్టిన ప్రతివాడూ వినే ఉంటాడు. పిల్లరు వంకరైతే ప్లాస్టింగ్‌లో కవరైపోద్ది, గోడ పొట్ట వస్తే ప్లాస్టింగ్‌లో కవరైపోద్ది. బయట గోడకు ప్లాస్టరింగ్ రెండు పూతలు కలిపి మహా అయితే 20 మిల్లీమీటర్లు. 4 అంగుళాలంటే దాదాపు 100. కిటికీని 100 మిల్లీమీటర్లు కిందికి దించే ప్లాస్టరింగ్ ఎక్కడుందో నాకు చూపించమన్నాను. "అదీ నిజమే సార్" అన్నాడు. ఆయనతో వచ్చిన చిక్కే అది, దేనికీ వాదించడు. కుడి చివరి సన్‌షేడూ, దాని లింటెలూ పగలగొట్టాల్సిందే. మధ్యదానికి చుట్టూ పట్టీ వేసి కంటిని మోసం చెయ్యాలి. ఇంజనీరు ఈ సలహా దారిలోంచే ఇచ్చాడు.

అప్పటికింకా తప్పు గొట్టానిదే అయ్యుంటుందని నాకు గట్టి నమ్మకం. లోపల గాలిబుడగలుంటే లెవెల్ తప్పు చూపిస్తుందని నేనూ ఎక్కడో చదివాను. దాన్ని చుట్టచుట్టి ఇంటికి తెచ్చి, రాత్రి హాల్లో మా ఆవిడను ఒక చివర పట్టుకోమన్నాను. "చూడు, నీ వైపు ఎంత ఎత్తినా నా వైపు నీళ్ళు కదలవు. నాసిరకం సరుకు. కొట్టువాణ్ణి రేపు కడిగేస్తాను" అన్నాను.

ఆవిడ తన చివర ఎత్తింది. నీళ్ళు కదల్లేదు. ఇంకా ఎత్తింది. కదల్లేదు. నేను విజయగర్వంతో చూశాను. ఆవిడ గొట్టం వెంబడే చూపు నడిపించుకుంటూ వచ్చి నా చేతి దగ్గర ఆగింది.

"ఏమండీ, వేలు తీస్తే కదా!"

తీశాను. అవతల చివర తలకన్నా పైకెత్తి ఉంది. నీళ్ళన్నీ ఒక్కసారిగా పల్లం తెలుసుకున్నాయి. ఆ పల్లం నేనే.

ఆవిడ ఆ రాత్రి నవ్విన నవ్వు గురించి రాయను. పొద్దున్నే మేస్త్రికి తనే ఫోన్ చేసి మొత్తం చెప్పింది. ఆయన నవ్వలేదట, "మేం తీయమని చెప్పాల్సింది మేడమ్" అన్నాడట. అంత మర్యాదగా అనకుండా ఉంటే బాగుండేది. సాయంత్రం నాకు ఫోన్ చేసి, రేపు పిట్టగోడకు లెవెల్ గీతలు పెట్టాలన్నాడు. ఎన్నింటికి రమ్మంటావన్నాను.

"మీరు రెస్టు తీసుకోండి సార్. ట్యూబు మేడమ్‌గారికిచ్చి పంపండి."

ఆవిడ ఆరింటికి అలారం పెట్టుకుంది.