ఇరవై శాతం గారికి, కల్లం కాడి నుంచి

మహారాజశ్రీ ఇరవై శాతం గారి దివ్యసముఖమునకు,

ఉత్తరం ఉభయకుశలోపరితో మొదలుపెట్టాలని చిన్నప్పుడు మా సార్లు నేర్పారు. ఉభయుల్లో మీరు కుశలమే, అనుమానం లేదు. మీకు ఏ వానా తగలదు. మేము మాత్రం పరకాల దారిలో మా ఊరి కొనుగోలు సెంటర్ కాడ తడిసిన వడ్లు తిరగేస్తున్నాం. చెప్పులు విప్పి, పాదాలు ఎత్తకుండా జరుపుకుంటూ నడిస్తే వడ్లలో చాళ్లు పడతాయి, అడుగున ఉన్న తడి పైకొస్తుంది. పొద్దటి నుంచి ఎన్ని చాళ్లు తీశానో మీరే లెక్కగట్టుకోండి, లెక్కలు మీ ఇంటి పని కదా.

మొన్న బేస్తవారం పొద్దున ఏడింటికి ఫోన్ తెరిస్తే, చిన్న మబ్బుబొమ్మ కింద వాన అవకాశమంటూ మీరు దర్శనమిచ్చారు. అన్న అడిగిండు: "తమ్మీ, పరదాలు తేవాల్నా? కిరాయి దుకాణంల పదింటికే అయిపోతయంటున్నరు." హన్మకొండలో ఇరవై మూడేళ్లుగా ఇంటర్ సెకండియర్ పిల్లలకు సంభావ్యత చెప్తున్న నేను కళ్లద్దాలు సర్దుకుని మరీ సెలవిచ్చాను: "అక్కర్లేదన్నా. ఇరవై శాతమే."

మూడు నలభైకి గాలిదుమారం లేచింది. నాలుగు కాకముందే వాన. ముప్పై అయిదు నిమిషాలు కొట్టింది, డెబ్బై కింటాళ్ల మీద. వదిన కొంగు పిండుకుంటూ, "ఇరవై శాతానికే గింతనా? నూరైతే ఎట్లుండునో" అన్నది. ఆ శాతం వాన ఎంత పడుతుందో చెప్పదు వదినా, పడుతుందా లేదా అన్నదానికే అని చెప్పాలనుకున్నాను. నోరు రాలేదు. అన్న అయితే ఒక్క మాట కూడా అనలేదు. తిట్టినా బాగుండేది.

ఈ సెంటర్‌లో ఇంకో శాతం గారున్నారు, మీకు చుట్టమేమో. వడ్లలో తేమ కొలిచే మాయిశ్చరు మిషన్‌లో ఉంటారు. 17 దాటితే కాంటా పెట్టరు. బుధవారం మా వడ్లకు 16.4 వచ్చింది, సంచులు రాలేదని కాంటా కాలేదు. (ఆ సంచులకు వేరే ఉత్తరం రాస్తాను.) శుక్రవారం పొద్దున 21.8. ఆ మిషన్ మీద నాకు సవాలక్ష అనుమానాలున్నాయి, అయినా దానితో కొట్లాడొచ్చు. "ఇంకో పిడికెడు వెయ్యి, కుప్పకు అటుదిక్కు నుంచి తియ్యి" అనొచ్చు. మూడుసార్లు వేస్తే మూడు అంకెలు ఇంచుమించు ఒకదాని పక్కనే ఒకటి వస్తాయి. గింజలో నీళ్లున్నాయి, ఆ నీళ్లకు తూకం ఉంది. మరి మీరు దేంట్లో ఉన్నారు? బేస్తవారంలో ఉన్నారా? ఆ బేస్తవారాన్ని ఇంకో పిడికెడు తీసి మిషన్‌లో పోసి చూద్దామంటే వీలుందా?

నా గోడంతా ఇదే. వాన పడకపోతే "ఎనభై శాతం పడదన్నాను కదా" అంటారు. పడితే "ఇరవై ఉందన్నాను కదా" అంటారు. గోడ మీది పిల్లి నయం, ఎప్పటికో అప్పటికి ఎటో ఒకవైపు దూకుతుంది. ఉగాదినాడు గుడి కాడ పంచాంగం చదివే అయ్యగారు ఈ ఏడు మేఘాధిపతి ఎవరో, వాన ఎన్ని ఆఢకాలో చెప్తాడు. తప్పితే దసరాకు జమ్మిచెట్టు కింద పట్టుకుని అడుగుతాం, నవ్వుతాడు. అడగడానికి ఒక మనిషైనా ఉన్నాడు.

మీ వంశం సంగతి నాకు తెలియందేం కాదు. పుట్టుక జూదంలో. 1654లో పాస్కల్, ఫెర్మా అనే ఇద్దరు ఫ్రెంచి పెద్దమనుషులు ఉత్తరాలు రాసుకున్నారు, ఆట మధ్యలో ఆగిపోతే పందెం సొమ్ము ఎట్లా పంచాలని. ఇద్దరు చెరి 32 నాణేలు కాశారు, ముందుగా మూడు గెలిచినవాడిది మొత్తం. ఒకడు రెండు, ఇంకొకడు ఒకటి గెలిచాక ఆట ఆగింది. పాస్కల్ ఏమన్నాడంటే: తర్వాతి ఆట మొదటివాడు ఓడినా సమానమై 32 వస్తాయి, అవి ఎట్లాగూ వాడివే. మిగిలిన 32 ఎవరివో తెలియదు కాబట్టి చెరి సగం. మొత్తం 48 ఒకడికి, 16 ఇంకొకడికి. ఎంత ముచ్చటైన తీర్పు! మా ఆట కూడా మధ్యలోనే ఆగింది. కోసి, ఎండబోసి, 16.4 దాకా తెచ్చి, ఒక్క కాంటా దూరంలో ఆగింది. మా 48 ఎవరిస్తారు?

తర్వాత స్విట్జర్లాండు బాసెల్‌లో లెక్కల పండితుడు జేకబ్ బెర్నూలీ. మీ గురించి ఇరవై ఏళ్లు ఆలోచించి, 1705లో కన్నుమూశాడు. పుస్తకం 1713లో గానీ అచ్చు కాలేదు. కుండలో 3000 తెల్లరాళ్లు, 2000 నల్లరాళ్లు ఉన్నాయనుకుందాం. ఒకటి తీసి, చూసి, మళ్లీ కుండలో వేసి, ఇంకొకటి తీసి... వచ్చిన పాళ్లు అసలు పాళ్లకు బాగా దగ్గరగా ఉన్నాయని వెయ్యికి ఒకటి పందెం కాసేంత ధీమా రావాలంటే ఎన్నిసార్లు తీయాలి? ఆయన లెక్కలో 25,550 సార్లు. మాకు ఏడాదికి రెండే తీయడాలు, వానాకాలం ఒకటి, యాసంగి ఒకటి. అంటే 12,775 ఏళ్లు. రామప్ప చెరువు తవ్వించి ఇప్పటికి ఎనిమిది వందల ఏళ్లే అయింది, అంతవరకు ఓపిక పట్టమని అన్నకు ఎట్లా చెప్పను?

ఇంకొకాయన రిచర్డ్ ఫాన్ మీజెస్, 1928లో కుండబద్దలు కొట్టాడు: శాతం అనేది గుంపుకే, ఒక్క మనిషి చావుకు శాతం అంటే అర్థమే లేదని. ఇది చదివి నేను పాఠంగా చెప్పుకుంటూ పోయాను. మా నాన్న, బాపు మాత్రం చదవకుండానే అడిగిండు. గుండె ఆపరేషన్ ముందురోజు డాక్టరు "తొంభై అయిదు శాతం సక్సెస్ పెద్దాయనా" అంటే, మంచం మీద లేచి కూర్చుని: "సారూ, నేను గా తొంబై అయిదుల ఉన్ననా, గీ అయిదుల ఉన్ననా?" డాక్టరు నవ్వాడు. నేనూ నవ్వాను, సిగ్గులేకుండా. పైగా ఏ గుంపు లెక్క అది? డెబ్బై దాటినవాళ్లదా, బీడీ తాగేవాళ్లదా, రోజూ పొలం దాకా నడిచి వచ్చేవాళ్లదా? మూడింటిలోనూ బాపే ఉన్నాడు, గుంపు మారితే శాతం మారుతుంది. ఈ చిక్కును జాన్ వెన్ అనే ఇంగ్లండు తర్కవేత్త 1866లోనే పట్టుకున్నాడు. బాపు బతికాడు. ఆ తొంభై అయిదు ఒప్పని దాంతో తేలిందా అంటే, అదీ తేలలేదు.

ఫోన్‌లోకి మీరెట్లా వస్తారో కూడా విన్నాను. ఐరోపా వాతావరణ కేంద్రం 1992లో మొదలుపెట్టిన పద్ధతి ఒకటుంది. ఇప్పటి గాలి, వేడి, తేమ కొలతలను కొసరంత అటూ ఇటూ మార్చి కంప్యూటర్‌లో రేపటిని యాభైసార్లు నడిపిస్తారు, మార్చకుండా ఇంకోసారి. పదింటిలో వాన పడితే దాదాపు ఇరవై శాతం. యాభై ఒక్క బేస్తవారాలు! మాకు ఇచ్చింది ఒక్కటే. అది కూడా ఏ జాగాదో మీరు చెప్పరు. హంటర్ రోడ్డులో ఎండ కాస్తుంటే కాజీపేటలో గొడుగు విప్పే ఊరు మాది.

తప్పుకు జరిమానా లేదా అంటే ఉందట. 1950లో గ్లెన్ బ్రియర్ అనే అమెరికా వాతావరణ శాఖాయన పెట్టాడు. చెప్పినదానికీ జరిగినదానికీ తేడా తీసి, వర్గం చేసి, చాలా రోజుల సగటు చూడాలి. వాన పడింది, అంటే 1. మీరన్నది 0.2. తేడా 0.8, వర్గం 0.64. డెబ్బై కింటాళ్లకు నీకు పడ్డ జరిమానా 0.64! రూపాయలా, పైసలా, కిలోలా? వట్టి 0.64. ఇంకో నాలుగు రోజులు ఇరవయ్యే అని, వాన పడకపోతే రోజుకు 0.04 చొప్పున పడి, అయిదు రోజుల సగటు 0.16కు దిగుతావు. శభాష్, సరిగ్గా అయిదింట ఒకటి పడింది, ఇరవై అన్న మాట నిలబెట్టుకున్నావని మెచ్చుకుంటారు. మా వడ్లు తడిస్తే గానీ నీ లెక్క సరిపోలేదన్నమాట. ఆ ఒక్కటీ మా కుప్ప మీదే పడాల్నా? నువ్వు అనేశాను, పడనీ. ఇరవై మూడేళ్లు మీరు మీరు అని పిలిచింది చాలు.

మా కథల్లో ఇంతకంటే మర్యాద ఉంది. అరణ్యపర్వంలో ఋతుపర్ణుడు రథం మీద పోతూ పోతూ తానిచెట్టును చూసి, కొమ్మల్లో ఆకులెన్నో కాయలెన్నో చెప్పేశాడు. బాహుకుడి వేషంలో రథం తోలుతున్న నలుడు "చిత్తం మహారాజా" అని ఊరుకున్నాడా? రథం ఆపాడు. చెట్టు పడగొట్టి, కూర్చుని లెక్కపెట్టాడు. సరిపోయిందని తేలాకనే తన గుర్రాల విద్య ఇస్తానని ఆయన పాచికల విద్య తీసుకున్నాడు. (అప్పటి పాచికలూ తానికాయలే, ఇది పిల్లలకు చెప్తే ఎక్కడలేని హుషారు వస్తుంది.) నేను ఏ చెట్టు కింద బండి ఆపాలి? ఏ కాయలు లెక్కపెడితే నీ ఇరవై తేలుతుంది?

1921లో కీన్స్ అనే ఇంగ్లండు ఆర్థికవేత్త గొడుగు సంగతి రాశాడు. బారోమీటరు గాలి ఒత్తిడి ఎక్కువ చూపిస్తుంటే (అది వాన రాదన్న గుర్తు), మబ్బులేమో నల్లగా ఉంటే, వాన అవకాశం ఎక్కువనో తక్కువనో తేల్చలేని సందర్భాలుంటాయని. బేస్తవారం రెండింటికి ఫోన్‌లో నువ్వు, గడపలో మా అవ్వ. "పడమట నల్లగ గుంజుతాంది, ఉడుకపోస్తాంది, కప్పుర్రి" అన్నది. అవ్వను ఆకాశానికెత్తే ఉద్దేశం నాకు లేదు. ఈ యాసంగిలో అంతకుముందు ఆరుసార్లు కప్పుమన్నది, ఆరుసార్లూ చుక్క పడలేదు. బ్రియర్ దగ్గరికి తీసుకుపోతే అవ్వ ఫెయిల్.

రాత్రి నిద్రపట్టక క్యాలెండర్ వెనక లెక్క వేశాను. పరదాల కిరాయి రెండు రోజులకు 400. మళ్లీ ఎండబోసే కూలి, తరుగు, ఇంకో వారం కావలి అన్నీ కలిపి అన్న చెప్పిన నష్టం 9 వేలు. అందులో ఇరవై శాతం 1800. నాలుగు వందలు పెట్టి కప్పాలని చెప్పడానికి పాస్కల్ లేచి రావాల్సిన పనిలేదు. యాదృచ్ఛిక చలరాశి అంకమధ్యమం అని పేరుపెట్టి ఇదే లెక్కను వందలమంది పిల్లలతో నేనే చేయించాను, స్టెప్పు వదిలితే మార్కులు కోశాను. డి ఫినెట్టి అనే ఇటలీ ఆయన 1974లో తన పుస్తకం ఇంగ్లిషులో వచ్చినప్పుడు ముందుమాటలో పెద్దక్షరాలతో రాసుకున్నాడు, సంభావ్యత అనేది లేదని. మబ్బులో వెతికితే దొరకదు, పందెం కాసేవాడి తలకాయలో ఉంటుందని. నా తలకాయలో ఏముందో నాకు తెలిసిపోయింది. మీరన్నది ఇరవై శాతం. "ఇరవై శాతమే" అన్నది నేను. ఆ "ఏ" ఫోన్‌లో ఎంత వెతికినా లేదు.

అయినా మిమ్మల్ని వదలను. పక్కన మబ్బుబొమ్మ పెట్టారు కదా, దాని పక్కన పరదా బొమ్మ ఒకటి పెడితే మీ సొమ్మేం పోయేది?

ఇట్లు,
ఇరవై మూడేళ్లుగా మీ ఉప్పు తింటున్న,
మీ లెక్కల సారు.

తా.క.: ఇప్పుడే ఫోన్ చూశాను, రేపటికి 10 శాతం. దుకాణంలో పరదాలు అయిపోయాయి. పెళ్లి టెంటు వాళ్ల దగ్గర ఎర్ర షామియానా ఒకటి దొరికితే తెచ్చి కుప్ప మీద కప్పి, నాలుగు మూలలా బండలు పెట్టాను. "గిది వానకు ఆగుతదా తమ్మీ" అని అన్న. అవ్వ ఆకాశం దిక్కు చూసి, రేపు వాన రాదు, తీసెయ్యమంటున్నది.