పడకగది గాయాలు ఆస్పత్రికి ఎందుకు ఆలస్యంగా చేరుతున్నాయి?

ఇమ్లీబన్ బస్టాండు మూత్రశాలల్లోనో, ఎంఎంటీఎస్ పెట్టెల్లోనో అంటించిన 'గుప్తరోగాలకు గ్యారంటీ వైద్యం' కాగితాలు చూడని హైదరాబాదీ ఉండడు. కూకట్‌పల్లి, దిల్‌సుఖ్‌నగర్ మెయిన్‌రోడ్ల మీదికి వస్తే సంతాన సాఫల్య కేంద్రాల బోర్డులు. లైంగిక ఆరోగ్యం గురించి ఈ నగరం నలుగురిలో మాట్లాడేది ఇంతే. ఒకటి మగతనం, రెండోది పిల్లలు. కలయికలో దెబ్బ తగిలితే, రక్తం ఆగకపోతే, కండోమ్ చిరిగిపోతే ఏ గదికి వెళ్లాలో చెప్పే బోర్డు ఎక్కడా కనపడదు.

ఈ గాయాలు, జబ్బులు వైద్యానికి కొత్తవి కావు. చాలావాటికి చికిత్స ఉస్మానియాలో, గాంధీలో ఎప్పటినుంచో ఉంది. మనిషిని ఎక్కువగా దెబ్బతీసేది ఆలస్యం. ఆ ఆలస్యాన్ని 'సిగ్గుపడి రాలేదు' అని రోగి మీదికి నెట్టేయడం మనకు అలవాటు. సిగ్గు నిజమే. కానీ దాన్ని పెంచి పోషిస్తున్నవాళ్లు వేరే ఉన్నారు. నలుగురి ముందు గట్టిగా ప్రశ్నలు అడిగే ఓపీ కౌంటరు, ఏ ప్రశ్నా అడగకుండా మాత్ర చేతిలో పెట్టే మెడికల్ షాపు, 'మొదట్లో అంతే' అని సర్దిచెప్పే ఇల్లు. ఈ మూడింటినీ వదిలేసి రోగికి ధైర్యం నూరిపోస్తే ఏమీ మారదు.

మగవాళ్ల సంగతి ముందు చూద్దాం. అక్కడ గంటల లెక్క స్పష్టంగా ఉంటుంది. అంగం గట్టిపడినప్పుడు లోపలి రక్తపు గదుల చుట్టూ ఉన్న పొర బాగా పలచబడుతుంది. మామూలుగా రెండు మిల్లీమీటర్ల మందం ఉండేది పావు మిల్లీమీటరు దాకా దిగుతుంది. ఆ స్థితిలో అంగం పక్కకు జారి ఎదుటి మనిషి ఎముకకు బలంగా తగిలినా, బలవంతంగా వంచినా ఆ పొర చిరుగుతుంది. టప్‌మని చప్పుడు వినపడుతుంది. గట్టిదనం వెంటనే పోతుంది. కాసేపట్లో వాచి, వంకాయ రంగుకు తిరుగుతుంది. అందులో ఎముక లేకపోయినా డాక్టర్లు కేస్‌షీటులో ఫ్రాక్చర్ అనే రాస్తారు. మూత్రం వచ్చే దగ్గర రక్తం కనపడితే మూత్రనాళం కూడా చిరిగిందేమో చూడాలి. వీలైతే ఒక రోజులోపు ఆపరేషన్ చేసి కుట్లు వేస్తే చాలామంది మళ్లీ మామూలుగా ఉంటారు. ఐస్ పెట్టుకుని, నొప్పి మాత్ర మింగి వారం గడిపితే మాత్రం చిరిగిన చోట మచ్చకట్టి అంగం వంకర తిరగొచ్చు, స్తంభన సమస్య శాశ్వతంగా మిగిలిపోవచ్చు. చెయ్యి విరిగితే అర్ధరాత్రి పక్కింటాయన్ని లేపి బండి తీయించే మనిషే, దీనికి ఎవరికీ చెప్పకుండా తెల్లారేదాకా పళ్లబిగువున పడుకుంటాడు.

స్తంభన తగ్గకపోవడం దీనికి పూర్తిగా ఎదురు సమస్య. నాలుగు గంటలు దాటిందంటే అది ఎమర్జెన్సీ. లోపల చేరిన రక్తం కదలదు, ఆక్సిజన్ అందక కండరం దెబ్బతింటూ ఉంటుంది. సూదితో ఆ రక్తాన్ని తీసి, మందు ఎక్కించి దించాలి. గోడ కాగితాలు 'గంటలకొద్దీ' అని ఊరించేది ఇలాంటిదాన్నే అంటే నవ్వాలో ఏడవాలో తెలియదు. సికిల్ సెల్ జబ్బు (ఎర్ర రక్తకణాలు కొడవలిలా వంకర తిరిగే వంశపారంపర్య జబ్బు) ఉన్న కుర్రాళ్లకు ఇది కలయికతో సంబంధమే లేకుండా నిద్రలోనూ రావచ్చు. ఉమ్మడి ఆదిలాబాద్ గిరిజన గూడేల్లో ఈ జబ్బు ఉంది. కేంద్ర ప్రభుత్వం 2023 జులైలో సికిల్ సెల్ నిర్మూలన మిషన్ మొదలుపెట్టి రక్త పరీక్షలు చేయించి కార్డులు ఇస్తోంది. కార్డు తీసుకున్న కుర్రాడు హాస్టల్లో ఉంటే, తెల్లవారుజామున మూడింటికి వార్డెన్ తలుపు కొట్టి ఏమని చెప్పుకోవాలి? 'ఇలా అయితే దాచుకోకు, వెంటనే ఆస్పత్రికి రా' అన్న ముక్క కార్డు ఇచ్చే రోజునే అతనికీ, వార్డెన్‌కీ చెప్పి ఉండాలి. చదువుకున్న పెద్దవాళ్లకే నోరు పెగలని మాటను పదహారేళ్ల పిల్లవాడు తనంతట తాను చెప్పాలని ఆశించడం అన్యాయం.

ఇక మాత్రలు. స్తంభన కోసం వేసుకునే సిల్డెనాఫిల్ (వయాగ్రా) డాక్టరు చీటీ లేకుండా అమ్మకూడని మందు. కానీ చీటీ అడిగే షాపును వెతుక్కోవాల్సి వస్తుంది. ఈ మందు చెడ్డది కాదు, సరైన మనిషికి బాగా పనిచేస్తుంది. ప్రమాదం ఎక్కడంటే, గుండెనొప్పికి నాలుక కింద పెట్టుకునే సార్బిట్రేట్ లాంటి నైట్రేట్ మందులతో ఇది కలిసినప్పుడు. రెండూ రక్తనాళాలను వదులు చేస్తాయి. బీపీ ఒక్కసారిగా పడిపోతుంది. సిల్డెనాఫిల్ వేసుకున్న ఇరవై నాలుగు గంటలు, అదే రకం మందు టడాలాఫిల్ అయితే నలభై ఎనిమిది గంటలు నైట్రేట్ ముట్టకూడదు. ఇప్పుడు ఒక ఇల్లు ఊహించండి. యాభై ఐదేళ్ల పెద్దమనిషి, షుగరు, బీపీ ఉన్నాయి. ఎవరికీ తెలియకుండా మాత్ర తెచ్చుకున్నాడు. రాత్రి ఛాతీలో నొప్పి వచ్చింది. కంగారులో భార్య సార్బిట్రేట్ పెట్టింది, ఆమె తప్పేమీ లేదు. క్యాజువాలిటీలో డాక్టరు 'ఏమేం మందులు వాడతారు' అని అడిగాడు. మంచం చుట్టూ కొడుకు, కోడలు, పక్క ఫ్లాటాయన. ఆ పెద్దమనిషి షుగరు బిళ్లల పేరు చెప్తాడు, బీపీ బిళ్లల పేరు చెప్తాడు, మూడోదాని పేరు చెప్పకుండా దాచేస్తాడు. ఇక్కడ అతన్ని ఏమనగలం? బంధువులను ఒక్క నిమిషం బయట నిలబెట్టి అడగాల్సింది డాక్టరు.

నిజానికి కలయిక వల్ల గుండె ఆగిపోతుందన్న భయం చాలామందికి అవసరంకంటే ఎక్కువగానే ఉంది. గుండె మీద పడే శ్రమ సుమారుగా రెండంతస్తుల మెట్లు చకచకా ఎక్కినంత. అది ఆయాసం, నొప్పి లేకుండా చేయగలిగినవాళ్లు సాధారణంగా భయపడాల్సిన పనిలేదు. స్టెంట్ వేయించుకుని ఇంటికి వెళ్లే మనిషికి ఉప్పు, నూనె, నడక గురించి చెప్తారు కానీ ఈ సంగతి తమంతట తాముగా చెప్పే కార్డియాలజిస్టులు తక్కువ. చెప్పకపోతే అతను రోడ్డు పక్క గుడారం వైద్యుణ్ని అడుగుతాడు. అక్కడ అమ్మే 'మూలికా' పొడుల్లో, లేహ్యాల్లో సిల్డెనాఫిల్‌నే కలిపి అమ్మడం ప్రపంచమంతటా దొరికిపోయిన మోసం. మూలికే కదా అని మనిషి నిశ్చింతగా ఉంటాడు, లోపల ఉన్నది అదే మాత్ర, ఎంత డోసో ఎవరికీ తెలియదు. లైంగిక శక్తి పెంచుతామని ప్రకటించడాన్ని 1954 నాటి డ్రగ్స్ అండ్ మ్యాజిక్ రెమెడీస్ చట్టమే నిషేధించింది. తెలంగాణ ఔషధ నియంత్రణ విభాగం అప్పుడప్పుడూ దాడులు చేసి సరుకు పట్టుకుంటూనే ఉంటుంది. కాగితం చించేస్తారు, బాగుంది. ఆ కాగితం చూసి ఫోన్ చేద్దామనుకున్న మనిషికి ఇంకో నంబరు ఇవ్వాలి కదా.

ఆడవాళ్ల విషయానికి వస్తే లెక్క మారుతుంది. వాళ్ల గాయాన్ని గాయంగా చూడటమే అరుదు. తొలిరాత్రి రక్తం రావాలన్న నమ్మకం ఇంకా చాలా ఇళ్లలో ఉంది. రానివాళ్లను అనుమానించడం ఎంత ఘోరమో ఇప్పటికే చాలామంది రాశారు. ఈ నమ్మకం చేసే రెండో హాని గురించి తక్కువ రాశారు. రక్తం రావడమే మామూలు అనుకుంటే, ధారగా పోతున్నా అది మామూలుగానే కనపడుతుంది. మొదటి కలయికలో చాలామందికి రక్తమే రాదు, వచ్చినవాళ్లకు కొన్ని చుక్కలతో ఆగుతుంది. గంటలో ప్యాడ్ తడిసిపోతోందంటే, గడ్డలు పడుతున్నాయంటే, కళ్లు తిరుగుతున్నాయంటే యోని గోడ, ముఖ్యంగా గర్భసంచి మెడ వెనక ఉన్న భాగం చిరిగి ఉండొచ్చు. కుట్లు వేస్తేనే ఆగుతుంది. పెళ్లికూతురిని పేట్లబుర్జు ప్రసూతి ఆస్పత్రికో సుల్తాన్‌బజార్ ప్రసూతి ఆస్పత్రికో తీసుకెళ్లాల్సిన ఆ గంటలో అత్తగారు, పిన్నిగారు కలిసి వేడిచేసిందని మజ్జిగ ఇస్తారు.

ఈ దేశంలో చట్టం కదిలింది కూడా ఇలాంటి గాయం వల్లే. కలకత్తాలో పదేళ్లు దాటిన ఫూల్‌మణి దాసి ముప్ఫైలలో ఉన్న భర్త వల్ల రక్తస్రావమై చనిపోయింది. 1890లో భర్త హరిమోహన్ మైతీ మీద విచారణ జరిగింది. పెళ్లాం కాబట్టి అత్యాచారం నేరం వర్తించలేదు, గాయపరిచినందుకు ఏడాది శిక్షతో సరిపెట్టారు. ఆ గొడవలోంచే 1891లో సమ్మతి వయసు పదినుంచి పన్నెండుకు పెరిగింది. పద్దెనిమిదేళ్లలోపు భార్యతో కలయిక కూడా అత్యాచారమేనని సుప్రీంకోర్టు చెప్పడానికి 2017 దాకా పట్టింది. పద్దెనిమిది దాటిన భార్యకు ఆ రక్షణ కొత్త న్యాయసంహితలోనూ లేదు. అయిదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం తెలంగాణలో 20-24 ఏళ్ల ఆడవాళ్లలో దాదాపు నాలుగోవంతు మంది పద్దెనిమిది నిండకుండానే పెళ్లయినవాళ్లు. వాళ్లలో ఒకరు రక్తంతో క్యాజువాలిటీకి వస్తే 'ఎలా జరిగింది' అన్న ప్రశ్న భర్త ఎదురుగా అడగకూడదని నర్సుకు, డ్యూటీ డాక్టరుకు నేర్పిస్తున్నామా?

వయసు మళ్లినవాళ్ల నొప్పికి అసలు ఎవరూ పేరే పెట్టరు. బహిష్టులు ఆగాక ఈస్ట్రోజన్ తగ్గి యోని గోడ పలచబడుతుంది, ఎండిపోతుంది. కలిసిన ప్రతిసారీ మంట, చిన్న చిన్న చీలికలు, ఆ తర్వాత మూత్రంలో మంట. దీనికి పైపూతగా వాడే ఈస్ట్రోజన్ క్రీము ఉంది, లూబ్రికెంట్ జెల్ ఉంది. 'ఈ వయసులో ఇంకా ఏంటమ్మా' అని నవ్వే డాక్టరు దగ్గర ఏ ఆడమనిషీ ఈ మాట ఎత్తదు. ఇంకా పెద్ద నష్టం, కలిసిన తర్వాత రక్తం కనపడటాన్ని 'ఎండిపోయి అయ్యుంటుంది' అని వదిలేయడం. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ బయటపడే తీరుల్లో అదొకటి. ఏ వయసులోనైనా కలిసిన తర్వాత మళ్లీ మళ్లీ రక్తం వస్తే స్పెక్యులమ్ (యోనిని తెరిచి లోపల చూసే పరికరం) పెట్టి చూడాల్సిందే. దేశంలో ఏటా లక్షకు పైగా ఆడవాళ్లకు ఈ క్యాన్సర్ వస్తోంది. రెడ్‌హిల్స్‌లోని ఎంఎన్‌జే క్యాన్సర్ ఆస్పత్రికి చేరేసరికి చాలామందికి ముదిరిపోయి ఉంటుంది. కారణం హెచ్‌పీవీ వైరస్, అంటుకునేది లైంగికంగా, టీకా ఉంది. కానీ మన దగ్గర ఆ టీకా పేరెత్తితే 2009లో ఖమ్మం జిల్లాలో గిరిజన బాలికల మీద చేసిన ప్రయోగం గుర్తొస్తుంది. తల్లిదండ్రులకు బదులు హాస్టల్ వార్డెన్ల చేత సంతకాలు పెట్టించారు. కొందరు బాలికల మరణాల తర్వాత 2010 ఏప్రిల్‌లో ఆపేశారు. మరణాలకు టీకా కారణం కాదని విచారణలో తేలినా, అనుమతి తీసుకున్న పద్ధతిని పార్లమెంటు స్థాయీ సంఘం 2013లో గట్టిగా తప్పుపట్టింది. టీకా మంచిదే, నేను మా ఇంట్లో పిల్లలకు వేయిస్తాను. అడగకుండా సూది వేసినందుకు పోయిన నమ్మకాన్ని మాత్రం పోస్టర్లతో తిరిగి తెచ్చుకోలేరు.

చిన్న సంగతులు కొన్ని త్వరగా. కొత్త పెళ్లికూతుళ్లకు వచ్చే మూత్రపు మంట ఎక్కువగా ఇ-కొలై బ్యాక్టీరియా వల్ల, కలిసిన తర్వాత మూత్రానికి వెళ్లడం, నీళ్లు బాగా తాగడం మేలు చేస్తాయి. డెటాల్‌తో లోపల కడగొద్దు, మంటతోపాటు మేలు చేసే బ్యాక్టీరియా కూడా పోతుంది. కొబ్బరినూనె, వాసెలిన్ తగిలితే లేటెక్స్ కండోమ్ బలహీనపడి చిరుగుతుంది. కలయిక మధ్యలో పిడుగు పడ్డట్టు తలనొప్పి వస్తే తగ్గిందని పడుకోకుండా స్కాన్ తీయించాలి, మెదడులో రక్తనాళం చిట్లి ఉండొచ్చు. ఆడవాళ్లకు కడుపులో ఒక పక్క హఠాత్తుగా పోటు వస్తే అండాశయంలో నీటితిత్తి పగిలిందేమో చూడాలి.

కండోమ్ చిరిగితేనో, బలవంతం జరిగితేనో గడియారం మొదలవుతుంది. గర్భం రాకుండా వేసుకునే మాత్ర డెబ్బై రెండు గంటల్లో, ఎంత త్వరగా అయితే అంత మంచిది. హెచ్‌ఐవీ సోకకుండా ఇచ్చే మందులు కూడా డెబ్బై రెండు గంటల్లోనే మొదలుపెట్టి ఇరవై ఎనిమిది రోజులు వాడాలి. మొదటి మాత్ర గురించి టీవీ ప్రకటనల వల్ల అందరికీ తెలుసు. రెండోదాని గురించి డిగ్రీ చదివినవాళ్లకూ తెలియదు. ప్రభుత్వ ఎయిడ్స్ హెల్ప్‌లైన్ 1097కు ఫోన్ చేస్తే చెప్తారు, డబ్బు ఖర్చు లేదు. సెగ, సవాయి లాంటి సుఖవ్యాధులకు పెద్ద ప్రభుత్వాస్పత్రుల్లో సురక్షా క్లినిక్‌లు ఉన్నాయి, మందులు ఉచితం. క్లమీడియా లాంటివి ఆడవాళ్లలో ఏ లక్షణమూ లేకుండా ఉండి గర్భనాళాలు మూసుకుపోయేలా చేస్తాయి. అప్పుడు పట్టని కుటుంబమే నాలుగేళ్ల తర్వాత పిల్లల కోసం లక్షలు పోస్తుంది.

పోలీసు కేసవుతుందన్న భయం ఇంకొకటి. ఇద్దరు పెద్దవాళ్లు ఇష్టపడి కలిసినప్పుడు ప్రమాదవశాత్తూ తగిలిన దెబ్బకు ఎవరి మీదా కేసు పెట్టాల్సిన అవసరం లేదు. అనుమానం ఉంటే డాక్టరు మెడికో లీగల్ కేసుగా, అంటే పోలీసులకు తెలపాల్సిన కేసుగా రాస్తాడు. లైంగిక దాడి బాధితులకు ప్రభుత్వ, ప్రైవేటు ఆస్పత్రులు రెండూ వెంటనే ఉచితంగా ప్రథమ చికిత్స, వైద్యం చేయాలి, నిరాకరిస్తే నేరం. ఒంటి మీద గాయం లేదు కాబట్టి ఇష్టంతోనే జరిగిందని తేల్చేయడానికి వీల్లేదు. యోనిలో వేళ్లు పెట్టి ఆమెకు ముందే కలయిక అలవాటుందా అని తేల్చే రెండు వేళ్ల పరీక్ష చేసిన డాక్టరు దుష్ప్రవర్తనకు పాల్పడినట్టేనని సుప్రీంకోర్టు 2022 అక్టోబరులో చెప్పింది. హైదరాబాద్‌లో 2016 నుంచి భరోసా కేంద్రం ఉంది, అక్కడ డాక్టరు, కౌన్సెలర్, పోలీసు ఒకేచోట దొరుకుతారు. పద్దెనిమిదిలోపు వాళ్ల విషయంలో పిల్లలను లైంగిక నేరాల నుంచి కాపాడే పోక్సో చట్టం కింద పోలీసులకు సమాచారం ఇవ్వడం తప్పనిసరి కావడం వల్ల ఇష్టపడి కలిసిన టీనేజర్లు నాటు వైద్యం వైపు పోతున్నారు. గర్భస్రావం కోసం వచ్చిన మైనరు, ఆమె సంరక్షకులు కోరితే పేరు, వివరాలు పోలీసులకు చెప్పక్కర్లేదని 2022 సెప్టెంబరు తీర్పులో కోర్టు కొంత దారి చూపింది. గాయంతో వచ్చిన మైనరు సంగతి ఆ తీర్పులో లేదు, ఆ దారి ఇంకా వేయాల్సి ఉంది.

అంతవరకూ ఆస్పత్రికి వెళ్లేవాళ్లు ఒకటి గుర్తుపెట్టుకోవచ్చు. కౌంటరులో 'సర్జరీకి' అనో 'గైనిక్‌కి' అనో చెప్తే చాలు, కారణం అక్కడ చెప్పక్కర్లేదు. పెళ్లయిందా లేదా అన్నది చీటీ రాయడానికి అవసరమైన వివరం కాదు. ఆడవాళ్లను మగ డాక్టరు పరీక్ష చేసేటప్పుడు పక్కన ఇంకో ఆడమనిషి ఉండాలని అడగడం, విషయం బయటికి పొక్కకూడదని కోరడం రోగుల హక్కుల పత్రంలో ఉన్నవే. 2019లో కేంద్ర ఆరోగ్య శాఖ అన్ని రాష్ట్రాలకూ ఆ పత్రం పంపింది.