ఈ అవార్డులు ఎవులిస్తన్నారు?

సిరిమానోత్సవానికి విజయనగరం వచ్చిన చుట్టాలతో ఆ రాత్రి మా ఇల్లు నిండిపోయింది. భోజనాలయ్యాక టీవీ పెడితే ఒక ఛానల్లో అవార్డుల ఫంక్షన్ వస్తోంది. ఉత్తమ కోడలు, ఉత్తమ అత్త, ఉత్తమ జంట అంటూ ఒక్కొక్కరినే స్టేజి మీదికి పిలుస్తున్నారు. మా మేనత్త కాసేపు చూసి, "ఇవి ఎవులిస్తన్నార్రా?" అంది. ఆ ఛానలే ఇస్తోంది అత్తా అన్నాను. "ఆళ్ల సీరియల్‌కి ఆళ్లే ఇచ్చుకుంటన్నారా?" అంది. నాకు జవాబు తోచలేదు. ఇరవై ఏళ్లుగా పత్రికల్లో పనిచేస్తున్నవాణ్ని, ఆ ప్రశ్న నేను ఎప్పుడో వేయాల్సింది.

ఛానల్ తన నటులను సత్కరించుకుంటే తప్పేమీ లేదు. అది ఇంటి పండగ. కానీ తెలుగు టీవీకి ఆ ఇంటి పండగ తప్ప బయటివాళ్ల మాట అంటూ ఒకటి లేకుండా పోయింది. ఒకప్పుడు ప్రభుత్వం టీవీ కార్యక్రమాలకు కూడా నంది ఇచ్చేది. ఇప్పుడు మిగిలింది టీఆర్పీ ఒక్కటే. ఎంపిక చేసిన ఇళ్లలో పెట్టిన మీటరు టీవీ ఏ ఛానల్ మీద ఉందో, ముందు ఎవరు కూర్చున్నారో చెబుతుంది. చూసినవాళ్లకు ఏమనిపించిందో దానికి తెలియదు. మా ఇంట్లో సాయంత్రం ఆరు నుంచి పది దాకా టీవీ మోగుతూనే ఉంటుంది. అందులో సగం సేపు వంటింట్లో కూర తరుగుతూ వినడమే. ఆ మీటర్ల లెక్కనైనా పూర్తిగా నమ్మగలమా అంటే, రేటింగుల్లో మోసం జరిగిందని 2020 అక్టోబరులో ముంబై పోలీసులు పెట్టిన కేసు తర్వాత న్యూస్ ఛానళ్ల రేటింగులు 2022 మార్చి దాకా ఆగిపోయిన సంగతి మనకు తెలుసు.

అమెరికాలో టీవీ గురించి రాసే విమర్శకులు, విలేకరులు కలిసి 1985 నుంచి ప్రతి ఏటా టీసీఏ (టెలివిజన్ క్రిటిక్స్ అసోసియేషన్) అవార్డులు ఇస్తున్నారు. ఓటర్లు అమెరికా, కెనడా కలిపి దాదాపు రెండు వందల మంది. నటనలో ఆడా మగా అని వేరు చేయరు, డ్రామాకు ఒకటి, కామెడీకి ఒకటి ఇస్తారు. ఆ వేడుకను టీవీలో చూపించరు కూడా. మరోపక్క అక్కడి టీవీకి పెద్ద అవార్డులైన ఎమ్మీలకు ఓటు వేసేది టీవీ పరిశ్రమలో పనిచేసేవాళ్లే. ఈ రెండింటి తేడా తెలియాలంటే 'ద వైర్' సంగతి చూడాలి. బాల్టిమోర్ అనే ఒక్క ఊరి మీద 2002 నుంచి 2008 దాకా ఐదు సీజన్లు నడిచిన సిరీస్ అది. ఆ ఊరి పత్రికలో విలేకరిగా పనిచేసిన డేవిడ్ సైమన్ దాన్ని తయారుచేశాడు. పోలీసులు, రేవు కూలీలు, బడిపిల్లలు ఆ ఊళ్లో ఎలా మాట్లాడతారో అలాగే మాట్లాడతారు. దానికి ఎమ్మీ నామినేషన్లు రెండంటే రెండు వచ్చాయి, రచనకు. అవార్డు ఒక్కటీ రాలేదు. విమర్శకులు మాత్రం దాన్ని వదల్లేదు. ఏళ్ల తరబడి రాశారు, 2008లో టీసీఏ తన హెరిటేజ్ అవార్డు ఇచ్చింది.

నాకు ఆ సిరీస్ మీద అంత ఆసక్తి కలగడానికి కారణం మా యాస. నేను చూసినంతలో తెలుగు సీరియల్లో శ్రీకాకుళం, విజయనగరం మాట వినపడిందంటే అది వాచ్‌మన్ పాత్ర, పనిమనిషి పాత్ర, కాకపోతే నవ్వించడానికి వచ్చిన పాత్ర. "ఏటి", "ఎవులు" అనే మనిషికి ఆ కథల్లో ఆస్తి ఉండదు, ప్రేమ ఉండదు, కనీసం కోపం కూడా ఉండదు. గురజాడ వాడుక భాషలో రాసిన నాటకం 1892లో ఇదే విజయనగరంలో ప్రదర్శించారు. ఆ ఊరి పక్కనుంచి ఇవాళ పని కోసం చెన్నై, హైదరాబాద్ రైలెక్కే కుటుంబాల కథ ఒక్కటి ప్రైమ్ టైమ్‌లో కనబడదు. మీటరుకు ఈ లోటు పట్టుబడదు. లేనిదాన్ని అది ఎలా లెక్కపెడుతుంది? రాసేవాడు పట్టుకోవాలి.

అలాగని విలేకరుల ఓటు అనగానే పవిత్రమైపోదు. అమెరికాలో సినిమాలకు, టీవీకి ఇచ్చే గోల్డెన్ గ్లోబ్స్ అవార్డుల సంగతే తీసుకోండి. వాటిని అప్పట్లో ఇచ్చింది హాలీవుడ్‌లో ఉండే విదేశీ విలేకరుల సంఘం, 87 మంది సభ్యులు. వాళ్లలో ఒక్క నల్లజాతి సభ్యుడూ లేడని 2021లో లాస్ ఏంజెలెస్ టైమ్స్ బయటపెట్టింది. ముప్పై మందికి పైగా సభ్యులను ఒక సిరీస్ షూటింగ్ చూపించడానికి పారిస్ తీసుకెళ్లి ఖరీదైన హోటల్లో పెట్టిన సంగతీ రాసింది. ఆ సిరీస్‌కు తర్వాత రెండు నామినేషన్లు వచ్చాయి. 2022లో ఎన్‌బీసీ ఛానల్ ఆ వేడుకను ప్రసారం చేయలేదు. 2023లో ఆ సంఘమే మూతపడింది. ఇప్పుడు ఆ అవార్డులకు వేరే యాజమాన్యం, మూడు వందలకు పైగా ఓటర్లు. ఆ సంఘం బండారాన్ని బయటపెట్టింది కూడా విలేకరులే అన్నది నాకు ధైర్యమిచ్చే విషయం.

మన దగ్గర పారిస్ టికెట్లు అక్కర్లేదు. పత్రిక, ఛానల్ ఒకే యాజమాన్యం కింద ఉండటం ఇక్కడ మామూలే. ఒక గ్రూపులో జీతం తీసుకునే విలేకరి పోటీ ఛానల్ సీరియల్ బాగుందని పేరు పెట్టి చెప్పగలడా? ఓటేసేవాడు తన సంస్థ కార్యక్రమానికి ఓటు వేయకూడదన్న నియమం లేకుండా తెలుగు టీవీకి విమర్శకుల అవార్డు మొదలుపెట్టడం దండగ. ఎవరు ఓటేశారో ఆ పేర్లు కూడా అచ్చులో రావాలి.

అంతకంటే పెద్ద చిక్కు ఒకటుంది. అసలు చూసేదెవరు? డైలీ సీరియల్ వెయ్యి ఎపిసోడ్లు దాటడం ఇప్పుడు మామూలైపోయింది. ఎపిసోడ్ ఇరవై రెండు నిమిషాలనుకున్నా వెయ్యికి 366 గంటలు. సినిమాకు శుక్రవారం మధ్యాహ్నానికల్లా పది రివ్యూలు వస్తాయి, ఏళ్ల తరబడి లక్షల ఇళ్లలో నడిచే సీరియల్‌కు ఒక్క రివ్యూ రాదు. ఆడవాళ్లు చూసేదే కదా అన్న చిన్నచూపు దీని వెనుక ఉందని నేను నమ్ముతాను. మా డెస్కుల్లో ఆ మాట చాలాసార్లు విన్నాను, ఒకప్పుడు నేనూ అన్నాను. రాసేవాడే లేనప్పుడు విమర్శకుల అవార్డు ఎక్కణ్నుంచి వస్తుంది?

అందుకే అవార్డు కంటే ముందు కాలమ్ కావాలి. వారానికి ఒకటి. మొత్తం సీరియల్ మీద కాకపోయినా, ఆ వారం ఐదారు ఎపిసోడ్లలో ఏ సన్నివేశం నిలబడింది, ఏ నటి మాట లేకుండా ఏం చేసింది, ఏ మలుపు కథను సాగదీయడానికే వచ్చింది అని రాయాలి. ఏడాది పాటు అలా రాసినవాళ్లకే ఓటు. శ్రీకాకుళంలో కాళీపట్నం రామారావు మాస్టారు 1997లో కథానిలయం పెట్టింది తెలుగు కథ ఎక్కడ అచ్చయినా తెచ్చి ఒకచోట ఉంచడానికే. టీవీని అంత శ్రద్ధగా చూసి, రాసి, దాచినవాళ్లు మనకు లేరు.

చూసే చూపు మాత్రం ఈ జిల్లాల్లో ఉంది. నాటక పోటీల్లో న్యాయనిర్ణేతలు ముందు వరసలో కాగితం పెట్టుకుని కూర్చుంటారు. నటన, రచన, దర్శకత్వం, రంగాలంకరణ, దేనికి దానికి వేరే మార్కులు. ఫలితం చెప్పాక నచ్చనివాళ్లు వాళ్లను టీ కొట్టు దాకా వెంబడించి ఎందుకిచ్చారని అడుగుతారు. ఆ ప్రశ్నకు జవాబు చెప్పలేని న్యాయనిర్ణేతను మరుసటి ఏడు ఎవరూ పిలవరు. రెండు జిల్లాల్లో పత్రికల్లో పనిచేసేవాళ్లం ఒక పది మందిమి, ఆ పోటీలకు మార్కులు వేసిన పెద్దలు ఒక ఐదుగురు కలిస్తే ఈ దసరాకే మొదలుపెట్టొచ్చు. స్టేజి, సెలబ్రిటీలు, స్పాన్సర్లు అక్కర్లేదు. ఒక పేజీ చాలు. ఏ సీరియల్, ఏ నటి, ఏ రచయిత, ఎందుకు అన్నది రాసి, కింద ఓటేసిన పదిహేను పేర్లు వేస్తే సరిపోతుంది. మొదటి కాలమ్ నేను రాస్తాను. ఏ సీరియల్‌తో మొదలుపెట్టాలో మా అత్తను అడిగాను. రెండు పేర్లు చెప్పింది, రెండోది ఎందుకు చూడటం మానేసిందో కూడా చెప్పింది.